ఏం చెట్టు?

ఇంటర్నెట్‌లో వెతికితే ఎక్కడో ఒక మొక్క నాటతారట. మా బడికి కంప్యూటర్లు వచ్చాక మేం విన్న కొత్త సంగతుల్లో ఇదొకటి. ఎకోషియా దాని పేరు, 2009లో బెర్లిన్‌లో మొదలైంది. బ్రౌజర్‌కు దాని ఎక్స్‌టెన్షన్ తగిలిస్తే మనం వెతికేదంతా ఆ దారినే పోతుంది. వెతికిన వాటితోపాటు కొన్నిసార్లు ప్రకటనలు కనిపిస్తాయి. ఎవరైనా నొక్కితే ప్రకటన ఇచ్చినవాడు డబ్బు కడతాడు. ఖర్చులు పోను మిగిలిన దాంట్లో పెద్ద భాగం మొక్కలు నాటే సంఘాలకు వెళ్తుంది. ఇప్పటికి 20 కోట్లకు పైగా నాటించామని వాళ్ల లెక్క.

అడవి పేరు చెప్పుకొని ఎవరొచ్చినా ముందు అనుమానంగా చూడటం మాకు అలవాటు. ఆ అలవాటు ఊరికే రాలేదు. అందుకే వివరాలు చదివాం. నెలనెలా జమాఖర్చులు బయటపెడతారు. సంస్థను అమ్ముకోకుండా, లాభాలు ఇంటికి తీసుకుపోకుండా యజమానులు 2018లో చట్టబద్ధంగా కట్టుబడ్డారు. మా వైపు మొక్కల కోసం వచ్చిన డబ్బు లెక్క అంత తేటగా మేమెన్నడూ చూడలేదు.

ఇదంతా పిల్లలకు చెబితే ఎనిమిదో తరగతి అమ్మాయి ఒకటే అడిగింది: "ఏం చెట్టు సార్?"

మా ఇళ్లలో ఎవరూ ఉత్త 'చెట్టు' అనరు. ఇప్ప, తునికి, చార, నల్లమద్ది, మోదుగు అంటారు. ఇప్పపువ్వు రాలే రోజుల్లో తెల్లారకముందే ఆడవాళ్లు, పిల్లలు బుట్టలు పట్టుకుని పోతారు. మా బడి హాజరు పట్టీ చూస్తేనే పూత కాలం తెలిసిపోతుంది. పువ్వు ఎండబెట్టి దాచుకుంటాం, తరువాత గింజలేరి నూనె తీస్తాం. ఏ చెట్టు కింద ఎవరు ఏరుకోవాలో ఊరికి తెలుసు. పొలంలో ఇప్ప ఉంటే దాన్ని వదిలేసి చుట్టూ దున్నుతాం. నీలగిరి తోటలో ఏరుకోవడానికి ఏముంది? మేక కూడా ఆ ఆకు ముట్టదు. లెక్కలో మాత్రం ఇదీ ఒకటే, అదీ ఒకటే.

ఎకోషియా డబ్బు వెళ్లిన చోట్లలో ఆఫ్రికాలోని బుర్కినా ఫాసో ఒకటి. అక్కడ గట్టిపడిన నేలలో అర్ధచంద్రాకారపు గుంటలు తీసి, వాననీరు నిలిపి, విత్తనాలు వేస్తారు. మంచి పని. ఆ నేలకు అది కావాలి. మా దగ్గర కథ వేరు. గనికో ఆనకట్టకో అడవి పోతే, బదులుగా కట్టించుకున్న డబ్బుతో వేరేచోట మొక్కలు నాటాలి. ఆ డబ్బు చూసుకోవడానికి 2016లో చట్టం వచ్చింది. నాటడానికి జాగా కావాలి గదా! పడావు పడిన పోడు చూసేవాళ్లకి ఖాళీ నేలే. అడవిని కాపాడుకునే అధికారం 2006 అటవీ హక్కుల చట్టం గ్రామసభకు ఇచ్చింది. అయినా మొక్కల బండి వచ్చాకే ఊరికి తెలిసిన సందర్భాలున్నాయి.

ఇంకో సంగతి. ప్రకటన ఇచ్చేవాడు కొనేవాడి కోసం చూస్తాడు. మా పిల్లలు కిరణజన్య సంయోగక్రియ అని వెతికితే ఎవడు ఏం అమ్ముతాడు? వాళ్ల వెతుకులాటకు మొక్క వచ్చేది తక్కువే. చెట్ల కోసమని అక్కర్లేని ప్రకటనలు నొక్కొద్దని చెప్పాం. కొనే ఉద్దేశం లేకుండా నొక్కితే అవతలివాడిని మోసం చేసినట్టే. పట్నంలో ఉద్యోగాలు చేసే మావాళ్లు వాడితే కాస్త ఫలితం ఉండొచ్చు, వాళ్లకు చెబుతున్నాం. బడి కంప్యూటర్లలోనూ ఉంచాం.

మొన్నటి గ్రామసభలో మాత్రం వేరే పని చేశాం. ఈసారి మా ఊళ్లో నాటేవి ఇప్ప, చార ఉండాలని తీర్మానంలో రాయించాం. నర్సరీలో ఆ మొక్కలు లేవన్నారు. విత్తనం మేమే ఏరి ఇస్తామన్నాం. ఇప్పగింజ ఎక్కువ రోజులు నిలవుండదు, తొలకరికే మట్టిలో పడాలి. సంచులు, ఎరువు వాళ్లు ఇస్తామన్నారు. గింజలేరే వంతులు ఇంటింటికీ వేసుకున్నాం.