ఈజిప్టు గాదెలు, మన కరువులు

తెలుగువాళ్ళకు ప్రాచీన ఈజిప్టు మొట్టమొదట ‘ఐగుప్తు’గా పరిచయమైంది. బైబిలును తెనిగించినవాళ్ళు వాడిన ఆ మాట మా పుట్టపర్తి చుట్టుపక్కల ప్రార్థనా మందిరాల్లో ఇప్పటికీ వినిపిస్తుంది. తర్వాత బడి పుస్తకం వచ్చి పిరమిడ్ బొమ్మ చూపించింది. ఆ పైన హైదరాబాదు పబ్లిక్ గార్డెన్స్ మ్యూజియంలో మమ్మీ ఉండనే ఉంది. ఆరవ నిజాం అల్లుడు నజీర్ నవాజ్ జంగ్ దానిని వెయ్యి పౌన్లకు కొన్నాడనీ, ఏడవ నిజాం 1930లో మ్యూజియానికి ఇచ్చాడనీ చెబుతారు. 2016లో దానికి సి.టి. స్కాను తీసి, ప్రాణవాయువు లేని అద్దాల పెట్టెలో భద్రపరిచారు. ఆమె రాకుమార్తె అంటారు. రాకుమార్తె కాకపోతే నిజాముల ఇంటికి వచ్చి ఉండేదా అన్నది వేరే సంగతి.

కొన్నేళ్ళ కిందట మా బడి పిల్లల్ని ఆ మ్యూజియానికి తీసుకువెళ్ళాను. పెట్టె చుట్టూ మూగి అందరూ ఆ కట్లవంక చూస్తుంటే, ఎనిమిదో తరగతి పిల్ల ఒకతె నన్ను అడిగింది: “సార్, వాళ్ళ దేశంలో వానే పడదంటిరే. మరి ఏం తినిరి?” కరువుసీమ పిల్లకు తప్ప ఇంకొకరికి తోచే ప్రశ్న కాదది. మా అనంతపురం ప్రాంతంలో ఏడాదికి సగటున 550 మిల్లీమీటర్ల వాన పడుతుంది. రాష్ట్రంలో ఇంతకన్న తక్కువ వాన పడే చోటు లేదని మనం వాపోతాం. ఫారోల రాజధాని థీబ్స్ ఉండిన చోట ఏళ్ళ తరబడి చినుకే రాలదు. అయినా అక్కడ మూడువేల ఏళ్ళు ఒక రాజ్యం నిలబడింది. ఏం తిని నిలబడింది? ఈజిప్టు చరిత్రను ఈ ప్రశ్న నుంచే మొదలుపెట్టాలని నా అభిప్రాయం. శవానికి చుట్టిన నారగుడ్డ ఎన్ని గజాలన్నది తర్వాత చూసుకోవచ్చు.

నైలు నది మన చిత్రావతి వంటిదే, ఒక్క విషయంలో. రెండూ పరాయి ఊరి వానతో పారే నదులు. చిత్రావతికి నీళ్ళు చిక్కబళ్ళాపురం గుట్టల మీద పడాలి. నైలు వరద ఇథియోపియా కొండల మీద పడాలి. పోలిక అంతటితో సరి. చిత్రావతి ఎప్పుడొస్తుందో, వస్తుందో రాదో ఎవరికీ తెలియదు. నైలు మాత్రం ఏటా జూన్, జూలై నెలల్లో పొంగి, సెప్టెంబరు దాకా పొలాలను ముంచి, నల్లమట్టి పరిచి వెనక్కి తగ్గేది. ఆస్వాన్ ఎత్తు ఆనకట్ట 1970లో పూర్తయ్యేదాకా ఈ క్రమం సాగింది. వరద ఎంత ఎత్తు లేచిందో కొలవడానికి రాతిమెట్లు కట్టి గీతలు గీశారు. వరద తక్కువైతే ఆకలి, మరీ ఎక్కువైతే గట్లు తెగి మళ్ళీ ఆకలే. అధికారికి ఆ గీతల మీద మరొక ఆసక్తి కూడా ఉంది: ఈ ఏడు పన్ను ఎంత రాబట్టవచ్చునో అవి చెబుతాయి.

ఇక్కడ మన మిత్రుల మధ్య తరచు నలిగే వాదమొకటి ఉంది. నీటిపారుదల పనులు పెద్దవి, వాటిని నడపడానికి కేంద్రీకృత నిరంకుశ రాజ్యం తప్పనిసరి, తూర్పుదేశాల నిరంకుశత్వానికి మూలం నీళ్ళే అని విట్‌ఫోగెల్ 1957లో పెద్ద పుస్తకం రాశాడు. ఈజిప్టు ఆయనకు ముఖ్యమైన ఉదాహరణ. కార్ల్ బుట్జర్ 1976లో నైలు లోయ నీటి వ్యవస్థను పరిశీలించి ఇందుకు విరుద్ధమైన నిర్ణయానికి వచ్చాడు. అక్కడ పొలాలకు నీరు పెట్టడం, గట్లు వేయడం, మడవలు తెరవడం చాలావరకు స్థానికంగానే జరిగాయని ఆయన చూపించాడు. రాయలసీమవాళ్ళకు ఇది వింతగా తోచదు. మా చెరువుల నీటిని పొలాలకు పంచినవాడు నీరుగంటి. చెరువు కట్టినవాళ్ళకు, మరమ్మతు చేసేవాళ్ళకు దశబంధం మాన్యాలుండేవి. విజయనగరంలో సింహాసనం మీద ఎవరున్నా బుక్కపట్నం చెరువు తూము ఎత్తేది ఆ ఊరివాడే.

మరి ఫారో బలమెక్కడిది? గాదెలో ఉంది. పండిన గోధుమను, యవలను కొలిచి, రాసి, గాదెల్లో పోసి, తాళం తన లేఖరుల చేతికిచ్చాడు. నాణెం లేని ఆ దేశంలో ధాన్యమే జీతం, పన్ను, అప్పు. యోసేపు కథ చదివినవాళ్ళకు ఈ సంగతి తెలుసు. ఏడేళ్ళ కరువులో జనం మొదట డబ్బిచ్చి ధాన్యం కొన్నారు. డబ్బయిపోగానే గొడ్లనిచ్చారు. గొడ్లయిపోయాక భూములనూ తమనూ ఫారోకు అప్పగించుకున్నారు. ప్రార్థనా మందిరంలో దీన్ని దేవుడి దయగా చెబుతారు. మా తాత దగ్గర వడ్డీ పత్రం రాయించుకున్న షావుకారు కూడా దయగలవాడనే పేరు తెచ్చుకున్నాడు.

ఆస్వాన్ దగ్గర సెహెల్ ద్వీపంలో ఒక బండమీద ఇలాంటి ఏడేళ్ళ కరువు కథే చెక్కి ఉంది. కథ జోసెర్ అనే పాతకాలపు రాజుది. చెక్కింది మాత్రం రెండువేల ఏళ్ళకు పైబడిన తర్వాత, టాలమీల కాలంలో. కరువు తీర్చినందుకు రాజు ఖ్నూమ్ దేవుడి గుడికి భూములూ, వాటి రాబడీ రాసిచ్చాడని దాని సారాంశం. పూజారులు తమ భూముల హక్కు కోసం సృష్టించుకున్న పాత దస్తావేజు ఇది అని పండితులు చాలామంది భావిస్తున్నారు. మనుషులు చచ్చిన కరువు గుడికి మాన్యమైంది!

రాజులూ పూజారులూ రాయించుకున్నది ఇది. పనివాళ్ళు రాసుకున్నది కూడా ఉంది. నన్ను ఈజిప్టు వైపు లాగింది ఈ రెండోదే. థీబ్స్ ఎదుట, నైలుకు పడమటి గట్టున, నదికి దూరంగా, గుట్టల మధ్య ఒక చిన్న ఊరు ఉండేది. ఇప్పుడు దానిని దేర్ ఎల్ మదీనా అంటారు. రాజుల లోయలో సమాధులు తొలిచిన రాతిపనివాళ్ళు, చిత్రకారులు కుటుంబాలతో అక్కడ కాపురమున్నారు. ఊళ్ళో నీటిచుక్క లేదు. గాడిదల మీద మోసి తెచ్చేవారు. సున్నపురాతి పెంకుల మీద, కుండపెంకుల మీద వాళ్ళు అప్పులు, తగాదాలు, ఉత్తరాలు, పద్దులు రాసుకున్నారు. అటువంటి పెంకు ఒకటి బ్రిటిష్ మ్యూజియంలో ఉంది. అది రెండవ రామ్సెస్ ఏలుబడి నలభయ్యో ఏటి హాజరుపట్టీ. ఒకడు తేలు కుట్టి రాలేదు. ఒకడు ఇంట్లో సారా కాస్తున్నాడు, అంటే వాళ్ళ యవల బీరు. ఒకడు తల్లి శవానికి కట్లు కడుతున్నాడు. కొందరికి ఒంట్లో బాగాలేదు. ఇంట్లో ఆడవాళ్ళు ముట్టయ్యారన్న కారణం కూడా రాసి ఉంది. ముప్పైయేళ్ళు హాజరుపట్టీలు రాసినవాణ్ణి నేను. ఏ రాజుగారి శాసనం చదివినా కలగని ఆత్మీయత నాకు ఈ పెంకుతో కలిగింది.

మూడవ రామ్సెస్ ఏలుబడి ఇరవైతొమ్మిదవ ఏట, అంటే క్రీస్తుకు పూర్వం 1157 ప్రాంతంలో, ఈ ఊరివాళ్ళకు జీతపు ధాన్యం రాలేదు. నెలలో పద్దెనిమిది రోజులు గడిచిపోయాయి. పనివాళ్ళు పనిముట్లు వదిలి, కాపలా గోడలు దాటి వచ్చి, మూడవ తుత్‌మోస్ గుడి వెనక కూర్చున్నారు. తర్వాత రెండవ రామ్సెస్ గుడికి వెళ్ళారు. అక్కడికే ఎందుకు? ఆ గుడిని ఆనుకుని మట్టి ఇటుకల కమానులతో కట్టిన పెద్ద గాదెలున్నాయి. వాటి గోడలు ఇప్పటికీ నిలిచి ఉన్నాయి. ఎక్కడ కూర్చోవాలో ఆకలిగొన్నవాళ్ళకు ఎవరూ చెప్పనక్కరలేకపోయింది. తిండి లేదు, బట్ట లేదు, నూనె లేదు, చేప లేదు, కూర లేదు, ఈ సంగతి ఫారోకు రాయండని వాళ్ళు అడిగారు. పాత బకాయి రాబట్టుకుని వెళ్ళారు, మరుసటి నెల మళ్ళీ వచ్చారు. గాదెల్లోనే ఏమీ లేదని మంత్రి కబురుపెట్టి సగం జీతం ఇప్పించాడు. లేఖరి అమెన్నఖ్త్ రాసినట్టు చెప్పే ఈ వృత్తాంతం ఇటలీలోని టురిన్ మ్యూజియంలో ఉంది. రాతపూర్వకంగా మనకు దొరికిన మొదటి సమ్మె ఇదే.

గాదెల్లో ఏమీ లేదన్న మాట నిజమేనా? అదే రాజు గుడులకు ఇచ్చిన కానుకల పద్దు 41 మీటర్ల పొడవు పపైరస్ చుట్టగా దొరికింది. ఒక్క అమోన్ దేవుడి ఆస్తిలోనే 86,486 మంది మనుషులు, 4,21,362 పశువులు లెక్కకొచ్చాయి. ఈ రెండు కాగితాలను పక్కపక్కన పెట్టి చదివించే పాఠ్యపుస్తకం నా కంటబడలేదు.

సమ్మె అనగానే ఉద్రేకపడేవాళ్ళకు ఒక మాట చెప్పాలి. ఆ పనివాళ్ళు నిరుపేదలు కారు. మామూలు రోజుల్లో ఒక్కొక్కడికి నెలకు నాలుగు ‘ఖర్’ల గోధుమ, ఒకటిన్నర ఖర్ యవలు ముట్టేవి. ఒక ఖర్ సుమారు 76 లీటర్లు. పెద్ద సంసారానికి చాలినంత తిండి అది. చదువు వచ్చినవాళ్ళు, చేతిలో పని ఉన్నవాళ్ళు కనుకనే వాళ్ళ ఆకలి కాగితమెక్కింది. ఆ ధాన్యం పండించిన రైతు ఎన్నిసార్లు పస్తున్నాడో ఏ పెంకూ చెప్పదు. అలాగే పిరమిడ్లను కొరడాదెబ్బల కింద బానిసలే కట్టారని మన సభల్లో ఇప్పటికీ అంటూనే ఉన్నారు. గీజాలో 1990 నుంచి బయటపడిన పనివాళ్ళ సమాధులు, దగ్గరలోనే తవ్విన రొట్టెల బట్టీలు ఆ మాటను బలపరచడం లేదు. ఎర్రసముద్రపు ఒడ్డున వాదీ అల్ జర్ఫ్‌లో 2013లో దొరికిన కాగితాల్లో మెరెర్ అనే పడవ మేస్త్రీ దినచర్య ఉంది. సుమారు నలభైమంది జట్టుతో తూరా గనుల నుంచి ఖుఫూ పిరమిడ్‌కు రాళ్ళు తోలిన లెక్క అది. వాళ్ళు రాజ్యం తిండిపెట్టి వంతులవారీగా పట్టుకొచ్చిన పనివాళ్ళు. బానిసత్వం అనే ఒక్క మాటతో ఈ సంబంధాన్ని తేల్చేస్తే, తిండి పెట్టి లొంగదీసే పద్ధతి మన కంటికి ఆనదు.

ఆ పద్ధతి మాకు పరాయిది కాదు. 1876–78 నాటి ధాత కరువులో ఇప్పటి అనంతపురం ప్రాంతం చాలావరకు బళ్ళారి జిల్లాలో ఉండేది. కరువు పనులకు వచ్చినవాళ్ళ కూలి ఎక్కువైపోతున్నదని కలకత్తా నుంచి సర్ రిచర్డ్ టెంపుల్‌ను పంపారు. మగకూలీకి రోజుకు ఒక పౌను ధాన్యం, ఒక అణా చాలునని 1877లో ఆయన తీర్మానించాడు. ఒక పౌను అంటే అరకిలో కన్న తక్కువ. అది తిని రోజంతా రాళ్ళు కొట్టాలి. మద్రాసు శానిటరీ కమిషనర్ డాక్టర్ కార్నిష్ ఈ కూలితో మనిషి బతకడని వాదించాడు. బొంబాయి రాజధానిలో వేలాదిమంది కూలీలు శిబిరాలు విడిచిపెట్టి వెళ్ళిపోయారు. పూనా సార్వజనిక సభ వాళ్ళ పక్షాన నిలబడింది. ఆ రోజుల్లోనే మద్రాసు రేవుకు ధాన్యం ఓడల్లో వస్తున్నది, రైళ్ళు నడుస్తున్నాయి. మూడువేల ఏళ్ళ కిందటి ఫారోకు ఈ రెండో వసతి లేదు. 1952 కరువులో గంజి కేంద్రం వరసలో నిలబడిన మా అవ్వ, గంజి పోసినవాణ్ణి గురించి ఎప్పుడూ మాట్లాడేది కాదు. గరిటె ఎంత లోతు ముంచాడో మాత్రం చేత్తో చూపించేది.

కడప జిల్లా పోరుమామిళ్ళలో 1369 నాటి చెరువు శాసనం ఉంది. కట్టించినవాడు బుక్కరాయల కొడుకు భాస్కరుడు. రోజుకు వెయ్యిమంది కూలీలు, రాళ్ళు తోలడానికి నూరు బండ్లు, రెండేళ్ళ పని అని అందులో స్పష్టంగా చెక్కారు. ఆ వెయ్యిమందిలో ఒక్కడి పేరు లేదు. ఎవడికి తేలు కుట్టిందో, ఎవడి తల్లి పోయిందో లేదు. మన తాటాకులను చెదలు తిన్నాయని సర్దిచెప్పుకుంటాం. చెదలు రాయించినవాళ్ళ ఆకులూ రాసుకున్నవాళ్ళ ఆకులూ ఏరి తినవు గదా! వాళ్ళకు రాత నేర్పలేదన్నది అసలు కారణం.

ఉపాధి హామీ పథకాన్ని 2006 ఫిబ్రవరి 2న అప్పటి మా జిల్లాలోని బండ్లపల్లిలోనే ప్రారంభించారు. పని చేసిన పదిహేను రోజుల్లోపు కూలి ముట్టాలని ఆ చట్టంలో రాసుకున్నారు. ఈ సంగతి, ఆ పద్దెనిమిది రోజుల సంగతి ఒకే గంటలో పదో తరగతికి చెప్పాను. వెనక బెంచీ నుంచి ఒకడు లేచి, తన తల్లికి ఎన్ని వారాల కూలి రావాలో లెక్కచెప్పాడు. సిలబస్‌లో లేని ఆ లెక్కను బోర్డు మీద వేయించాను.

దేర్ ఎల్ మదీనా గురించి మరొక సంగతి ఉంది. ఊరి పక్కనే రాతిలో ఒక పెద్ద గొయ్యి ఉంది. నీటి కోసం యాభై మీటర్లకు పైగా తవ్వారు. నీళ్ళు పడలేదు. అప్పులు చేసి వందల అడుగులు బోర్లు వేయించి దుమ్ము చూసిన మా రైతులకు ఆ గొయ్యి ఎటువంటిదో విడమర్చి చెప్పనక్కరలేదు. తర్వాత దాన్ని చెత్తకుండీగా వాడుకున్నారు. 1922 నుంచి 1951 వరకు ఆ చోట తవ్వకాలు జరిపిన ఫ్రెంచివాడు బెర్నార్ బ్రూయేర్ చివరి సంవత్సరాల్లో ఆ గొయ్యిని అడుగుదాకా ఖాళీ చేయించాడు. రాసిన పెంకులు వేల సంఖ్యలో బయటపడ్డాయి.