టర్కీకోడికి కాపలా

బోస్టను నగరానికి పడమరగా, వుస్టర్ పట్టణం పక్కన, ష్రూస్‌బరీ అని ఒక వూరు వున్నది. మా తమ్ముడి కాపరం అక్కడ. కాలేజీకి మూడు వారాలు సెలవు పెట్టి మొన్న నవంబరులో వెళ్ళాను. నయాగరా జలపాతం గురించి వ్రాస్తాననుకొనే పాఠకులు నన్ను క్షమించాలి. నేను నయాగరా చూడలేదు. చూసిందల్లా ఒక బండరాయి, ఒక పొయ్యి, ఆ పొయ్యిలో తెల్లవార్లూ మగ్గిన ఒక కోడి.

నేను వెళ్ళేసరికి ఇంట్లో ఫ్రిజ్ గురించి తగాదా నడుస్తున్నది. పధ్నాలుగు పౌన్ల టర్కీకోడి, అంటే మన లెక్కన ఆరు కిలోల పైమాటే, మంచుగడ్డలా బిగిసి మధ్య అరలో కూర్చున్నది. దాన్ని బయట పెట్టి కరిగించకూడదట. పైభాగం వెచ్చబడి చెడిపోయేసరికి లోపల ఇంకా రాయిలాగే వుంటుందిట. ఫ్రిజ్‌లోనే, నాలుగైదు పౌన్లకు ఒక రోజు చొప్పున, మూడు రోజులకు పైగా నెమ్మదిగా కరగాలి. ఆ కారణాన దోసెల పిండి, నేను మోసుకుపోయిన గోంగూర పచ్చడి, మా మేనకోడలి పెరుగు, అన్నీ నిలవనీడ లేకుండా బయటపడ్డాయి.

"మనం తినేది అరముక్క గదా, ఇంత ఏనుగుపిల్ల ఎందుకురా?" అన్నాను.

"ఇది మనది కాదు అక్కయ్యా, పక్కింటి పెద్దాయనది," అన్నాడు తమ్ముడు.

ఆ పెద్దాయనకు డెబ్బై తొమ్మిదేళ్ళు. భార్య ఆ వేసవి ముందే పోయింది. యాభై ఏళ్ళపాటు ప్రతి నవంబరు నాలుగో గురువారం నాడు, వారు థాంక్స్ గివింగ్ అనే పండుగకు, ఆవిడ ముందు రాత్రే కోడిని పొయ్యిలో పెట్టి పడుకొనేదట. పొద్దున లేచేసరికి ఇల్లంతా ఆ వాసన. ఈ ఏడు ఆయన తన పొయ్యి వెలిగించలేనన్నాడు. ఆవిడ చేతివ్రాతతో వున్న ఒక కాగితం ముక్క తెచ్చి మా మరదలి చేతికి ఇచ్చి, "నీకు వీలైతే" అని మాత్రం అని వెళ్ళిపోయాడు.

కాగితం మీద "200 డిగ్రీలు, రాత్రంతా" అని వుంది. ఇవి ఫారన్‌హీట్ డిగ్రీలు. మా మరదలు ఆసుపత్రిలో మందుల విభాగంలో పని చేస్తున్నది, సూక్ష్మజీవుల సంగతి ఆమెకు తెలిసినంత మనకు తెలియదు. ఆ దేశపు వ్యవసాయశాఖవారు 325 డిగ్రీలకు తక్కువగా పొయ్యి పెట్టవద్దంటారు. 40కీ 140కీ మధ్య మాంసం ఎక్కువసేపు నిలిస్తే పురుగు పెరుగుతుంది. లోపలి వేడి 165కు వచ్చిందాకా ఎవరికీ వడ్డించకూడదు. కాగితాన్ని తోసిపుచ్చితే ఆ పెద్దాయన మనసు నొచ్చుకొంటుంది, పాటిస్తే ఆయన వొంటికే ముప్పు రావచ్చు. ఆ కాగితాన్ని అయస్కాంతంతో ఫ్రిజ్ తలుపుకి అంటించి, మా మరదలు మూడు రోజులు దానివంక చూస్తూనే వున్నది.

మధ్యలో ఒకరోజు నన్ను ప్లిమత్ తీసుకువెళ్ళారు. 1620లో మేఫ్లవర్ ఓడలో వచ్చినవారు వలస నిలిపిన చోటు అది. వారు కాలు మోపారని చెప్పుకొనే రాయి సముద్రపు వొడ్డున, గొప్ప రాతి మంటపం కింద, గుంటలో పడివున్నది. మంటపం చూస్తే ఎంతో వూహించుకొంటాం. తీరా చూస్తే మా వూరి చెరువుగట్టు మీద చాకిరేవు బండ ఇంతకంటే పెద్దది. దాని మీద 1620 అని చెక్కివున్నది, అంతే.

ఆ రాయికి ఎదురుగా, కోల్స్ హిల్ అనే చిన్న మిట్ట మీద, వాంపనోగ్ జాతి నాయకుడు మాససాయిట్ కంచువిగ్రహం వున్నది. 1621లో పంట ఇంటికి వచ్చాక వలసవారు చేసిన విందుకు ఆయన తొంభై మందితో వచ్చాడు, అయిదు దుప్పులు తెచ్చి ఇచ్చాడు. విందు చూసినవాడు వ్రాసిన ఉత్తరంలో పక్షుల మాంసం అని వుందిగాని టర్కీ అన్న పేరు లేదట. 1863లో లింకన్ ప్రకటన తరువాతనే అది ఏటేటా దేశమంతటి పండుగ అయింది. ఇవన్నీ నాకు చెప్పింది పదేళ్ళ మా మేనకోడలు. "అత్తయ్యా, వాళ్ళకి ఇది పండుగ కాదు. 1970 నుంచి ఇదే రోజున ఇక్కడికి వచ్చి దుఃఖదినం జరుపుకొంటారు," అని అక్కడ నాటిన ఫలకం చూపించింది. వచ్చినవారి వెంట వ్యాధులూ యుద్ధాలూ వచ్చాయి, భూములు పోయాయి. ఆ పిల్ల రెండు సంగతులూ ఒకే గొంతుతో చెప్పింది. మా చిన్నప్పుడు మాకు చరిత్ర ఇలా చెప్పలేదు.

తెలుగు మాష్టరమ్మను గనుక పేరు గురించి ఒక్క మాట. ఈ కోడి పుట్టిల్లు అమెరికా ఖండం. ఇంగ్లీషువారు దీన్ని టర్కీ అన్నారు. టర్కీవారేమో "హిందీ" అన్నారు. ఫ్రెంచివారి మాటలోనూ ఇండియాయే వున్నది. డచ్చివారు ఏకంగా మన కాలికట్టు పేరు తగిలించారు. ఏ దేశంవారూ తమదని ఒప్పుకోలేదన్నమాట! జహంగీరు పాదుషాకు గోవానుంచి ఒకటి తెచ్చి ఇస్తే, ఆయన ఆస్థాన చిత్రకారుడు మన్సూరు 1612 ప్రాంతంలో దాని బొమ్మ వేశాడు. ఆ బొమ్మ ఇప్పుడు లండనులో వున్నది.

బుధవారం రాత్రికి మా మరదలు ఒక నిర్ణయానికి వచ్చింది. కడుపులో కూరే రొట్టెముక్కలు విడిగా వండుతుంది. మొదటి గంట 400, తరువాత తెల్లవార్లూ 250. "ఆవిడ మాట సగం, ప్రభుత్వం మాట సగం, వదినగారూ," అన్నది. ఇదే సరైన పద్ధతని నేను చెప్పటం లేదు. ఇంట్లో కుదిరిన రాజీ ఇది. పదకొండు గంటలకు కోడి లోపలికి వెళ్ళింది. తొడలో గుచ్చిన సూదికి సన్నని తీగ, ఆ తీగ చివర బల్లమీద అంకెలు చూపే చిన్న పెట్టె.

మనకూ వారికీ పదిన్నర గంటల తేడా. నాకు నిద్ర పట్టక వంటింట్లో కుర్చీ వేసుకొని కూర్చున్నాను. మా అమ్మ వసారా మూలన దాలి గుంటలో పిడకలు రాజేసి, మట్టికుండలో పాలు పెట్టేది. పొద్దున పెట్టినవి మధ్యాహ్నానికి ఎర్రబారి, పైన అరచేతిమందాన మీగడ కట్టేవి. పిల్లి రాకుండా నేను కాపలా. తొడమాంసం నెమ్మదిగా మగ్గితే అందులోని గట్టి పీచు కరిగి జిగురవుతుందని మరదలు చెప్పింది గాని, అమ్మ అంత శాస్త్రం చెప్పలేదు, "సెగ పెంచావంటే వీపు చిట్లుతుంది" అనేది, అంతే.

మూడు గంటల నలభై నిమిషాలకు దీపాలు పోయాయి.

బయట గాలి హోరు. ఆ వూళ్ళో కరెంటు తీగలు స్తంభాల మీదనే, చెట్లమధ్యనే పోతాయి. కొమ్మ విరిగితే అంతే సంగతులు. నేను ఓవెన్ తలుపు తీయలేదు. మరదల్ని లేపాను, ఆమె వెనక తమ్ముడూ దిగివచ్చాడు. పెట్టె బ్యాటరీతో నడిచేది గనుక చీకట్లో అంకె మెరుస్తున్నది: 147.

"140కి దిగితే పారేద్దాం. పెద్దాయన తినేది," అన్నది మరదలు.

ముగ్గురం కంబళ్ళు కప్పుకొని ఆ అంకె చుట్టూ కూర్చున్నాం. 148 అయింది. పొయ్యి ఆరినా లోపలి వేడి ఇంకా కోడిలోకి దిగుతూనే వున్నది. 150. 151. అక్కడ చాలాసేపు ఆగింది.

"దాలి దగ్గర నిన్ను కూర్చోబెడితే పిల్లి మీగడ తిన్నది, జ్ఞాపకం వున్నదా అక్కయ్యా?" అన్నాడు తమ్ముడు.

"పిల్లి కాదురా, నువ్వే."

వాడు చాలాసేపు మాట్లాడలేదు. అమ్మ పోయినప్పుడు వాడికి విమానం దొరక్క మూడోనాటికి గాని రాలేకపోయాడు. ఆ మాట మేమిద్దరం ఎన్నడూ ఎత్తలేదు. "నేను వచ్చేసరికి దాలి గుంట పూడ్చేశారు," అన్నాడు. "నేనే పూడ్పించాను, కర్మ రోజున జనం కాలు పడుతుందని," అన్నాను. మరదలు అంకెనే చూస్తూ వుండిపోయింది. 150కి దిగింది.

నాలుగున్నరకు దీపాలు వచ్చాయి. పొయ్యి రాలేదు! కరెంటు పోయివస్తే అది దానంతట అది వెలగదు, గడియారం అంకెలు మాత్రం మిణుకుమిణుకుమంటాయి. అందరం నిద్రపోయివుంటే తెల్లవార్లూ చల్లారుతూనే వుండేది. మరదలు ఎవర్నీ అడక్కుండా 325 నొక్కింది. పావుతక్కువ ఆరుకు తొడలోనూ రొమ్ములోనూ 165 దాటింది.

పెద్దాయన పన్నెండింటికి టై కట్టుకొని వచ్చాడు. గుమ్మంలో ఆగి, ఒకసారి గాలి పీల్చి, కళ్ళజోడు తీసి తుడుచుకొన్నాడు. క్రాన్‌బెర్రీ పచ్చడి నాకు మన వాక్కాయలను తలపించింది, కాస్త పచ్చిమిరప తగిలితే బాగుండును. కోడి తొడ ఎముకనుంచి చెంచాతోనే వూడివచ్చింది. ఆయన రెండుసార్లు వడ్డించుకొన్నాడు. "రొమ్ము కొంచెం ఆరింది," అన్నాడు. మరదలి మొహం చిన్నబోయింది. "ఆవిడ వండినా అంతే ఆరేది," అని నవ్వాడు. 400, 250, కరెంటు సంగతి అన్నీ మరదలు ఒప్పుకొన్నది.

ఆయన ఫ్రిజ్ మీది కాగితం తీసి వెనక్కి తిప్పాడు. వెనక సన్నని అక్షరాలతో ఏ ఏడు ఎన్ని పౌన్లు, ఎన్ని గంటలు అన్నది వరసగా వ్రాసివున్నది. మేము ఎవ్వరం తిప్పి చూడలేదు. జేబులోంచి పెన్సిలు తీసి మరదలి చేతికి ఇచ్చాడు. ఆమె పధ్నాలుగు పౌన్లు అని వ్రాసి, గంటలు వ్రాసి, "కరెంటు యాభై నిమిషాలు లేదు" అని కూడా వ్రాసింది.

శుక్రవారం మిగిలిన ఎముకలన్నీ పెద్దగిన్నెలో వేసి, మిరియాలూ వెల్లుల్లీ దంచివేసి, చారు కాచాం. సాయంత్రం పెద్దాయన తన గిన్నె తానే తెచ్చుకొన్నాడు.