ముప్పావలా వడ్డీ, ఇరవై ఏళ్ళ అప్పు

ఇల్లు కట్టి చూడు, పెళ్ళి చేసి చూడు అన్నారు పెద్దలు. ఇప్పుడు దానికి మూడోది కూడా చేర్చాలి, ఇంటి లోను తీర్చి చూడు అని! ఇల్లు ఏడాదిలో లేస్తుంది. పెళ్ళి మూడు రోజుల్లో అయిపోతుంది. లోను మాత్రం ఇరవై ఏళ్ళు మన వంటింట్లోనే, పోపులపెట్టె పక్కనే కూర్చుంటుంది. ముందు దాని వాటా తీసి పక్కన పెట్టాకే, ఈ నెల కందిపప్పు రెండు కిలోలా మూడు కిలోలా అని మనం తేల్చుకోవాలి. అందుకే ఇది మగవాళ్ళు చూసుకుంటార్లే అని వదిలెయ్యకుండా మనమూ కాస్త తెలుసుకుంటే మంచిదని ఈ నాలుగు మాటలూ రాస్తున్నాను.

మాది కొండపల్లి. బొమ్మల ఊరు కదా, మీకు వేరే చెప్పక్కర్లేదు. మా వీధిలో ఒక పిన్నిగారు పొణికి కర్ర బొమ్మలకి రంగులు వేస్తారు. వాళ్ళబ్బాయి ఇల్లు కొనుక్కుందామని లోను కోసం తిరుగుతున్నాడు. ఆవిడ నాతో, "తొమ్మిది శాతం అంటున్నారమ్మా. అంటే ముప్పావలా వడ్డీయేగా! బయట రెండు రూపాయలకి తక్కువ ఎవరిస్తున్నారు? ఇంకా ఆలోచించేదేముంది?" అన్నారు.

ఆవిడ లెక్క తప్పేం కాదు. నూటికి నెలకి రూపాయి వడ్డీ అంటే ఏడాదికి 12 శాతం. ముప్పావలా అంటే 9 శాతం. మన రాష్ట్రంలో 2004లో డ్వాక్రా సంఘాలకి మొదలుపెట్టిన పావలా వడ్డీ అంటే 3 శాతం. ఈ లెక్కలు మన ఆడవాళ్ళకి ఎవరూ నేర్పక్కర్లేదు. కానీ వడ్డీకి రెండు చేతులుంటాయి. ఒకటి రేటు, రెండోది కాలం. మనం ఎప్పుడూ మొదటిదాన్నే చూస్తాం. జేబులోకి దూరేది రెండోది.

నూరు రూపాయలు రెండు రూపాయల వడ్డీకి తెచ్చి రెండేళ్ళకి తీర్చేశామనుకోండి. వడ్డీ 48 రూపాయలు. అదే నూరు ముప్పావలా వడ్డీకి తెచ్చి, నెలనెలా అసలు కొంచెం కొంచెం తీరుస్తూ ఇరవై ఏళ్ళు కట్టామనుకోండి. వడ్డీ 116 రూపాయలు! అంటే నూటికి 216 కడతాం. రెండు రూపాయలకి తెచ్చుకోమని కాదు సుమండీ నేననేది. ఆ వడ్డీతో ఇరవై ఏళ్ళంటే కొంపే మిగలదు. చవక వడ్డీ కూడా ఎక్కువ కాలం కూర్చుంటే ఖరీదైపోతుందని అంటున్నాను.

మేం 2016లో ఇక్కడ రెండు గదుల ఫ్లాటు కొన్నాం. లోను 20 లక్షలు, గడువు 20 ఏళ్ళు. మధ్యలో వడ్డీ మారుతూ వచ్చింది గానీ, మీకు తేలిగ్గా తెలియడానికి మొదటినుంచీ 9 శాతమే అనుకుని చెబుతాను. నెలకి వాయిదా, అదే ఇ.ఎం.ఐ., 17,995 రూపాయలు. ఇరవై ఏళ్ళకి మొత్తం 43 లక్షల 19 వేలు. అంటే 23 లక్షల పైచిలుకు వడ్డీయే.

ఇందులో ఇంకో సంగతుంది. మొదటి నెల కట్టిన 17,995లో వడ్డీకి పోయేది 15,000. అసలులో తగ్గేది 2,995. ఇది మీరే వేసుకోవచ్చు. మిగిలిన అప్పుని 9తో గుణించి 1200తో భాగిస్తే ఆ నెల వడ్డీ వస్తుంది. వాయిదాలోంచి అది తీసేస్తే మిగిలింది అసలుకి జమ. పాలవాడి లెక్క క్యాలెండరు మీద వేసుకునే మనకి ఇదో లెక్కా!

మన డెల్టాలో కాలవ కింద వ్యవసాయం చేసేవాళ్ళకి ఇది ఇట్టే అర్థమవుతుంది. నీళ్ళు వదిలితే ముందు ఎగువ పొలాలు తడుస్తాయి. అవి తాగగా మిగిలినవే శివారుకి. మన వాయిదాలో వడ్డీ ఎగువ పొలం, అసలు శివారు పొలం. మొదట్లో శివారుకి చేరేది చెంబెడు నీళ్ళే. ఏళ్ళు గడిచి అప్పు తగ్గినకొద్దీ ఎగువ పొలం చిన్నదై, అప్పుడు శివారుకి ధార పెరుగుతుంది.

ఆ లెక్కన అయిదేళ్ళలో 10 లక్షల 80 వేలు కడితే, అసలులో తగ్గేది 2 లక్షల 26 వేలు మాత్రమే. ఇంకా 17 లక్షల 74 వేలు బాకీ ఉంటుంది. అప్పు సరిగ్గా సగానికి రావడానికి ఎన్నాళ్ళు పడుతుందో చెప్పండి? పదేళ్ళు అంటారు చాలామంది. కాదు, 14 ఏళ్ళు! ఇందులో బ్యాంకు వాళ్ళ మోసం ఏమీ లేదు. బాకీ ఎక్కువ ఉన్నప్పుడు వడ్డీ ఎక్కువ అవుతుంది, అంతే. తెలియకపోతే మాత్రం, "ఇన్నాళ్ళూ కట్టిందంతా ఏమైంది?" అని ఇంట్లో ఒకళ్ళనొకళ్ళు అనుకోవడమే మిగులుతుంది.

గడువు సంగతి చూడండి. అదే 20 లక్షలు 30 ఏళ్ళకి పెట్టుకుంటే వాయిదా 16,092కి దిగుతుంది. నెలకి 1,900 మిగిలిందని సంబరపడతాం. మొత్తం మాత్రం 57 లక్షల 93 వేలవుతుంది, అంటే పద్నాలుగున్నర లక్షలకి పైగా అదనం. అదే 15 ఏళ్ళకి పెట్టుకుంటే వాయిదా 20,285. నెలకి 2,290 ఎక్కువ. మొత్తం 36 లక్షల 51 వేలు. ఆరున్నర లక్షలకి పైగా మిగులు. కాబట్టి "నెలకెంత?" అని అడిగి ఊరుకోకండి. "అన్నీ కలిపి ఎంత?" అని కూడా అడగండి. చీర కొనేటప్పుడు నాలుగు షాపులు తిరిగే మనం ఈ ఒక్క మాట అడగడానికి మొహమాటపడితే ఎలా?

ఈ వడ్డీ స్థిరంగా కూడా ఉండదు. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే మారే వడ్డీ ఇంటి లోన్లని రిజర్వు బ్యాంకు రెపో రేటు లాంటి దానికి ముడిపెట్టాలని నియమం వచ్చింది. ఆ రెపో 2020 మేలో 4 శాతం. 2022 మే నుంచి ఎక్కుతూ ఎక్కుతూ 2023 ఫిబ్రవరికి ఆరున్నరైంది. మళ్ళీ 2025లో తగ్గుతూ వచ్చింది. ఎక్కినప్పుడు చాలామందికి వాయిదా మారలేదు. హమ్మయ్య అనుకున్నారు. మారింది గడువు!

ఉదాహరణకి 6.75 శాతం మీద 20 లక్షలు, 20 ఏళ్ళకి తీసుకుంటే వాయిదా 15,207. రెండేళ్ళు కట్టాక వడ్డీ 9.25 అయిందనుకోండి. అప్పటికున్న బాకీ మీద ఒక్క నెల వడ్డీయే 14,635 అవుతుంది. శివారుకి వెళ్ళేవి 572 రూపాయలు. అదే వాయిదా కడుతూ పోతే, 18 ఏళ్ళలో తీరాల్సిన అప్పు 35 ఏళ్ళు దాటుతుంది. వాయిదా పెరగలేదని ఊరుకున్న ఇంట్లో కొడుకు చదువు, పెళ్ళి అయిపోయి మనవలు పుట్టినా లోను తీరదన్నమాట.

అందుకే 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు, వడ్డీ మారినప్పుడు వాయిదా పెంచుకుంటారా, గడువు పెంచుకుంటారా అన్నది లోను తీసుకున్నవాళ్ళకే వదలాలని చెప్పింది. మూడు నెలలకోసారి అసలుకెంత, వడ్డీకెంత, ఇంకెన్ని వాయిదాలు అనే స్టేట్‌మెంటు కూడా ఇవ్వాలి. ఆ కాగితాన్ని అగరొత్తుల డబ్బా కింద పెట్టేయకండి. అందులో "ఇంకెన్ని వాయిదాలు" అన్న అంకె ఒక్కటి చూస్తే చాలు, సగం విషయం తెలిసిపోతుంది.

ఇక మా ఇంటి సంగతి. మావారు ప్రైవేటు ఉద్యోగి. 2033లో రిటైరవుతారు. లోను ఆఖరి వాయిదా 2036లో. ఈ రెండు అంకెలూ పక్కపక్కన రాసుకున్నరోజు నాకు నిద్ర పట్టలేదు. జీతం ఆగిపోయాక మూడేళ్ళపాటు నెలకి 18 వేలు ఎక్కణ్ణుంచి తేవాలి? పిల్లలు పంపుతారా? వాళ్ళ సంసారాలు వాళ్ళకుండవూ!

2021లో నా చీటీ చేతికొచ్చింది, మూడు లక్షలు. వంటింట్లో కొత్త అల్మరాలు, చిమ్నీ పెట్టించుకోవాలని నాకు ఎప్పటినుంచో కోరిక. నేను కాగితం మీద లెక్క వేశాను. అయిదేళ్ళు గడిచిన లోనులో 2 లక్షలు ఒకేసారి అసలుకి కడితే, వాయిదా అలాగే ఉంచితే, చివర్లో 37 వాయిదాలు ఎగిరిపోతాయి. మూడేళ్ళ పైమాటే! ఆ 37 వాయిదాల విలువ 6 లక్షల 65 వేలు. మావారు ఒకటికి రెండుసార్లు కూడి చూసుకుని, "నీ వంటిల్లో?" అన్నారు. "ఉన్న గూళ్ళలో డబ్బాలు పడుతున్నాయిగా" అన్నాను. 2 లక్షలు లోనుకి కట్టి, లక్ష అనారోగ్యాలకీ అవసరాలకీ బ్యాంకులో వేశాం.

బ్యాంకులో ఇలా ఎక్కువ కట్టేటప్పుడు రెండు విషయాలు గుర్తుంచుకోండి. మారే వడ్డీ మీద ఉన్న ఇంటి లోను ముందుగా తీరిస్తే బ్యాంకులు జరిమానా వెయ్యకూడదని 2012లోనే రిజర్వు బ్యాంకు చెప్పింది. రెండోది, "వాయిదా తగ్గించమంటారా, గడువు తగ్గించమంటారా?" అని అడుగుతారు. ఇల్లు గడుస్తున్నట్టయితే గడువు తగ్గించమనండి. రసీదు కూడా అసలుకి జమ అని రాయించి తీసుకోండి.

పెద్ద మొత్తం లేకపోయినా దిగులుపడక్కర్లేదు. ఏడాదికి ఒక్క వాయిదా ఎక్కువ కట్టినా, ఇరవై ఏళ్ళ లోను పదహారున్నరేళ్ళలో తీరుతుంది. పిన్నిగారికి నేను చెప్పింది ఇదే. వాళ్ళకి బొమ్మల మీద డబ్బు కళ్ళబడేది దసరాకీ సంక్రాంతికీ. బ్యాంకుకేమో నెలనెలా కావాలి. అందుకని వాయిదా మోయగలిగినంతే పెట్టుకుని, పండగల్లో చేతిలో ఆడిన డబ్బులోంచి కొంత అసలుకి కట్టమన్నాను. అదీ మొదటి ఏళ్ళలోనే. చివర్లో కట్టిన దానికంటే మొదట్లో కట్టిన రూపాయికి బలం ఎక్కువ.

"అద్దె కట్టినా తిరిగి రాదు కదా, ఇల్లు మిగులుతుందిగా" అంటారు మీరు. నిజమే. లోను తీసుకోవద్దని నేను అనను. సొంత గోడకి మేకు కొట్టుకునే సుఖం నాకూ తెలుసు. "బంగారం కొంటే పెరుగుతుందిగా" అని కూడా అంటారు. పెరగొచ్చు, తగ్గొచ్చు. అప్పు మీద 9 శాతం మిగలడం మాత్రం ఖాయం. అలాగని ఇంట్లో రూపాయి లేకుండా ఊడ్చిపెట్టి లోనుకి కట్టకండి. రేపు ఆసుపత్రి అవసరం వస్తే మళ్ళీ రెండు రూపాయల వడ్డీకి పరిగెత్తాలి. క్రెడిట్ కార్డు బాకీ, చేబదులు నోటు లాంటి ఎక్కువ వడ్డీ అప్పులుంటే ముందు అవి తీర్చాకే ఇంటి లోను జోలికి రండి.

కొత్తగా లోను తీసుకునేవాళ్ళకి ఒక్కమాట. 2024 అక్టోబరు నుంచి లోను ఇచ్చేముందు అన్ని ఖర్చులూ కలిపి ఏడాదికి ఎంత శాతం పడుతుందో రాసిన కాగితం ఇవ్వాలి, అదీ మనకి అర్థమయ్యే భాషలో. దాన్ని కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ అంటారు. అడిగి తీసుకుని చదవండి. ప్రాసెసింగ్ ఫీజు, ఇన్సూరెన్సు లాంటివి లోనులోనే కలిపేస్తామంటే ఆగండి. 60 వేల ప్రీమియం లోనులో కలిస్తే, ఇరవై ఏళ్ళలో దానికి మనం కట్టేది సుమారు లక్షా 30 వేలు. చేతనైతే అది విడిగా కట్టెయ్యడమే మేలు. లోను పూర్తిగా తీరాక 30 రోజుల్లో దస్తావేజులు తిరిగి ఇవ్వాలి. వాళ్ళ వల్ల ఆలస్యమైతే రోజుకి 5,000 చొప్పున మనకివ్వాలని 2023లో నియమం వచ్చింది. ఇది కూడా మనసులో పెట్టుకోండి.

2021 తర్వాత వడ్డీ ఎక్కినప్పుడల్లా మా గడువు కూడా జరగబోయింది. జరిగినప్పుడల్లా వాయిదా కొంచెం పెంచమని రాసిచ్చాం. ఆ ఏడాది పట్టుచీర లేదు, అంతే. 2033 అన్న అంకె దాటకుండా కాపలా కాయడం ఇప్పుడు నా పని. ఇంట్లో గ్యాసు ఎప్పుడు అయిపోతుందో, బియ్యం ఎన్నాళ్ళొస్తాయో చెప్పగలిగినవాళ్ళం, అప్పు ఎప్పుడు తీరుతుందో కూడా చెప్పగలగాలి. ఈ ఆదివారం మధ్యాహ్నం భోజనాలయ్యాక మీ ఇంటి లోను కాగితం బయటికి తీయించండి. "ఇంకెంత ఉంది? ఏ సంవత్సరానికి తీరుతుంది? అప్పటికి ఈయన వయసెంత?" ఈ మూడే ప్రశ్నలు. జవాబులు కాగితం మీద రాసుకుని చూడండి. ఆ తర్వాత ఏం చెయ్యాలో మీకే తెలుస్తుంది.