కాగితం అడగడం అనుమానం కాదు

శేరిగూడ చుట్టుపక్కల ఇంజనీరింగ్ కళాశాలలు వెలసిన తరువాత విద్యార్థుల వసతిగృహాలు కూడా పెరిగాయి. పరుపులు కుట్టే మా వారికి ఆ విధంగా కొంత ఉపాధి లభించింది. కొన్నేళ్ల క్రితం ఒక వసతిగృహం వారు ఫోనులోనే 60 పరుపులు కావాలన్నారు. "ఒక కాగితం వ్రాయించుకోండి" అన్నాను. "తెలిసినవారిని కాగితం అడిగితే అనుమానించినట్లుంటుంది" అన్నారాయన.

పరుపులు దింపి వచ్చారు, సంతకం తీసుకోలేదు. మూడు నెలల తరువాత డబ్బు అడిగితే, "మాకు అందినవి 48 మాత్రమే" అన్నారు. వారు అబద్ధమాడారని నేను నేటికీ అనలేను. లెక్క ఎక్కడ తప్పిందో తేల్చే ఆధారం మా వద్దా లేదు, వారి వద్దా లేదు. దూది వ్యాపారి బాకీ తీర్చడానికి నా గాజులు అమ్మవలసి వచ్చింది.

ఆ రోజుల్లోనే అల్ బఖరా సూరాలోని 282వ ఆయత్‌ను అర్థంతో సహా చదివాను. దివ్యఖుర్‌ఆన్‌లో అన్నిటికన్నా పొడవైన ఆయత్ అదే. అది బాకీల వ్రాతను గురించినది. గడువు పెట్టిన బాకీని, చిన్నదైనా పెద్దదైనా, వ్రాసుకోవడానికి విసుగు చెందరాదని, బాకీ పడినవాడే చెప్పి వ్రాయించాలని, సాక్షులుండాలని అందులో ఆదేశం ఉంది. మా వారికి చదివి వినిపించాను. ఆయన చాలాసేపు మాట్లాడలేదు.

ఇప్పుడు మాకు నాలుగు కాగితాలు తప్పనిసరి. ధర, కొలత, దూది రకం తెలిపే కొటేషన్ మేమిస్తాము. కొనుగోలు ఆర్డరు కొనేవారిది. ఎన్ని, ఏ ధరకు, ఎప్పటిలోగా కావాలో వారే వ్రాసి సంతకం చేస్తారు. బాకీ పడేవాడే వ్రాయించాలన్న ఆదేశం నాకు ఇందులో కనిపిస్తుంది. సరుకు వెంట వెళ్లే చలానాపై, అందుకున్నవారు లెక్కపెట్టి, తేదీ వేసి సంతకం చేయాలి. చివరిది బిల్లు, అందులో ఆర్డరు సంఖ్య, చలానా సంఖ్య ఉండాలి.

2006 నాటి సూక్ష్మ, చిన్న, మధ్యతరహా సంస్థల అభివృద్ధి చట్టం ప్రకారం, చిన్న ఉత్పత్తిదారుకు చెల్లింపు గడువు ఒప్పందంలో ఎలా వ్రాసుకున్నా 45 రోజులు మించరాదు. సరుకు ఏ రోజు అందిందో రుజువు లేకుంటే ఆ రోజులు లెక్కించేదెట్లా?

మొన్న ఒకచోట మా వారు చలానా అందించగా, అక్కడి పెద్దమనిషి లెక్కపెట్టి "రెండు తక్కువ" అన్నారట. ఆ రెండూ మా ఇంట్లోనే మిగిలిపోయాయి. సంతకం అడగకుంటే, మాది కాని సొమ్ము మాకు తెలియకుండానే మా ఇంటికి వచ్చేది.