బ్రౌనీ మెడలో మా అక్క అడ్రస్

రాజమండ్రి నుంచి విశాఖ సుమారు 190 కిలోమీటర్లు. నేషనల్ హైవే 16 మీద కారులో నాలుగు గంటలు చాలు. పక్క సీట్లో కుక్క ఉంటే మాత్రం ఐదు గంటలు వేసుకోండి. రెండు గంటలకోసారి ఆపాలి, నీళ్లు పట్టాలి, ప్రతి మైలురాయినీ అది వాసన చూసేదాకా ఓపిక పట్టాలి.

రైల్లో ఎందుకు వెళ్లలేదంటారా? కుక్కను మనతో కూర్చోబెట్టుకోవాలంటే ఫస్ట్ ఏసీలో కూపేనో క్యాబినో మొత్తం మనకే దొరకాలి. లేదంటే గార్డు దగ్గరుండే బోనులో పెట్టాలి. బ్రౌనీకి దీపావళి టపాసులంటేనే ప్రాణం పోతుంది, ఇక బోను ఎక్కడ? అందుకే కారు తీశా.

బ్రౌనీ మా అక్క కుక్క. దేశీ జాతి, మూడేళ్లు. అక్కకు ఉద్యోగంలో విశాఖ బదిలీ అయింది. మొదట కొన్నాళ్లు హాస్టల్లో ఉంది. ఆ రోజులన్నీ బ్రౌనీ రాజమండ్రిలో అమ్మానాన్నల దగ్గరే. ఇప్పుడు అక్కకు ఒక అద్దె ఇల్లు దొరికింది. కుక్కంటే అభ్యంతరం లేని ఓనర్ దొరకడం అంటే లాటరీ తగిలినట్టే. అలా బ్రౌనీని దింపి రావడం నా డ్యూటీ అయింది.

బయల్దేరేటప్పుడు అమ్మ మరీమరీ చెప్పింది. "దాని మెడలో ఆ పట్టీ మాత్రం తీయకురా, తప్పిపోతే కనిపెట్టలేం."

ఆ పట్టీ జీపీఎస్ కాలర్. నిజం చెప్పాలంటే చాలా పనికొచ్చే వస్తువు. ఒక దీపావళి రాత్రి టపాసుల మోతకు బెదిరిపోయి బ్రౌనీ గోడ దూకి పారిపోతే, మూడు కిలోమీటర్ల అవతల ఒక లారీ కింద నక్కి ఉన్న దాన్ని ఆ కాలరే చూపించింది. కాబట్టి కాలర్లు వద్దు అని చెప్పే వ్యాసం కాదిది.

అన్నవరం దగ్గర ఫోన్ మోగింది

జగ్గంపేట, ప్రత్తిపాడు, కత్తిపూడి దాటాక రోడ్డు అన్నవరం వస్తుంది. హైవే పక్కనే సత్యదేవుడి ప్రసాదం అమ్మే కౌంటర్లు. విస్తరాకులో పొట్లం కట్టి ఇచ్చే ఆ గోధుమ నూక ప్రసాదం కోసం ఈ దారిలో ఎవరైనా బ్రేకు వేస్తారు. నేనూ వేశా. కారు దిగానో లేదో అక్క ఫోన్.

"ఏరా, అన్నవరం వచ్చేశారు కదా! నాకో రెండు పొట్లాలు తీసుకో."

నేను చెప్పనేలేదు. యాప్‌లో చూస్తోంది. బ్రౌనీ చుక్క మ్యాప్ మీద కదులుతుంటే పొద్దుట్నుంచీ అదే చూస్తూ కూర్చుందట. రోజూ కోడ్ రాసేవాణ్ని కాబట్టి నాకు వెంటనే వచ్చే ప్రశ్న ఒకటే. "నీకు కనిపిస్తోంది సరే అక్కా. ఇంకా ఎవరెవరికి కనిపిస్తోంది?"

సెట్టింగ్స్‌లోకి వెళ్లి చూడమన్నా. రెండు పేర్లున్నాయి. ఫ్యామిలీ మెంబర్: అక్క. ఓనర్: బావ మెయిల్.

కాసేపు అవతల మాట లేదు. "అది తనే కొన్నాడు కదరా. అప్పుడు తన మెయిల్‌తోనే పెట్టాడు" అంది మెల్లగా.

అక్కా బావా విడిపోయి ఏడాది కావస్తోంది. కోర్టులో కేసు నడుస్తోంది. అక్క విశాఖలో ఉందని ఆయనకు తెలుసు. ఏ కాలనీ, ఏ వీధి అన్నది తెలీదు. తెలియకూడదనే అక్క కొత్త ఇంటి అడ్రస్ చుట్టాలకు కూడా ఇవ్వలేదు. ఆ ఒక్క జాగ్రత్త మీదే తన నిద్ర ఆధారపడి ఉంది. ఇంకో రెండున్నర గంటల్లో నేను ఆ అడ్రస్‌ను కుక్క మెడలో పెట్టి, గుమ్మం దాకా గీత గీసి మరీ చూపించబోతున్నా.

బావ యాప్ తెరిచి చూస్తున్నాడా? ఆ సంగతే మర్చిపోయాడా? మాకు తెలీదు. ఆయన చెడ్డవాడని చెప్పడం నా ఉద్దేశం కూడా కాదు. చూస్తున్నాడో లేదో మనకు తెలిసే దారి ఆ యాప్‌లో లేదు. భయమంతా అక్కడే.

చుక్క ఎక్కడికి వెళ్తుంది?

చాలామంది శాటిలైట్ మన కుక్కను చూస్తోందనుకుంటారు. అలా ఏమీ ఉండదు. జీపీఎస్ శాటిలైట్లు సిగ్నల్ పంపుతాయంతే, మన గురించి వాటికేమీ తెలీదు. ఆ సిగ్నళ్లు అందుకుని తానెక్కడుందో లెక్క కట్టేది కాలర్‌లోని చిప్. ఆ లెక్కను కాలర్‌లోని సిమ్ మొబైల్ నెట్‌వర్క్ ద్వారా కంపెనీ సర్వర్‌కు పంపుతుంది. మన ఫోన్ ఆ సర్వర్‌ను అడిగి చుక్క చూపిస్తుంది. అంటే మన ఫోన్లోంచి యాప్ తీసేసినా సర్వర్లో దారి మొత్తం అలాగే ఉంటుంది. ఓనర్ అకౌంట్ ఎవరిదైతే ఆ దారి వాళ్లకు తెరిచి ఉంటుంది.

ఆ చుక్క ఎంత కచ్చితమో కూడా చూడండి. అక్షాంశంలో దశాంశ బిందువు తర్వాత రెండు అంకెలుంటే సుమారు 1.1 కిలోమీటర్ల తేడాతో చోటు తెలుస్తుంది. నాలుగు అంకెలుంటే 11 మీటర్లు. అంటే ఏ ఊరో అన్నది పోయి ఏ ఇల్లో అన్న దగ్గరికి వచ్చేస్తుంది. పైగా కుక్క రోజూ ఒకే టైముకు వాకింగ్‌కి వెళ్తుంది, రాత్రి ఒకే చోట పడుకుంటుంది. వారం రోజుల చుక్కలు చూస్తే చాలు, ఇల్లు ఏదో, ఇంట్లో వాళ్లు ఎప్పుడు బయటికెళ్తారో ఎవరికైనా అర్థమవుతుంది. అది కుక్క టైంటేబుల్ కాదు, మనది.

చివరి చుక్క

"వెంటనే ఆఫ్ చేసెయ్" అంది అక్క. నేను ఒక్క నిమిషం ఆగమన్నా. ఆఫ్ చేసిన చోటే మ్యాప్‌లో చివరి చుక్కగా మిగులుతుంది. ఇంటికెళ్లాక ఆఫ్ చేస్తే ఆ చివరి చుక్క ఇంటి మీదే ఉంటుంది. అన్నవరంలో అయితే ఏ ఇబ్బందీ లేదు. రాజమండ్రి ఇల్లు ఆయనకు తెలిసిందే, హైవే అందరికీ తెలిసిందే.

ముందు అక్కతో స్క్రీన్‌షాట్లు తీయించా. ఓనర్ ఎవరు, మెంబర్ ఎవరు, తేదీ, టైము అన్నీ కనిపించేలా. కేసు నడుస్తున్నప్పుడు రేపు లాయరు అడిగితే చూపించడానికి ఉండాలి. ఆ తర్వాత కాలర్ తీసి బటన్ నొక్కి పట్టుకున్నా. రెండు నిమిషాల తర్వాత అక్క ఫోన్లో ఆఫ్‌లైన్ అని వచ్చింది. చివరిసారి కనిపించిన చోటు: అన్నవరం.

"చూసేవాళ్లు కుక్క సత్యనారాయణ వ్రతం చేయించుకోవడానికి వెళ్లిందనుకుంటారు" అన్నా. అక్క నవ్వింది. పొద్దుట్నుంచీ అదే మొదటిసారి.

అక్కడి నుంచి తుని, నక్కపల్లి, యలమంచిలి, బెల్లానికి పేరుపడ్డ అనకాపల్లి. మ్యాప్‌లో ఆ దారికి గీత లేదు. బ్రౌనీ కిటికీలోంచి తల బయట పెట్టి గాలి పీలుస్తూ కూర్చుంది. దాని ఛాతీ బెల్టుకు మా నాన్న ఫోన్ నంబరున్న ఇత్తడి బిళ్ల ఉంది. ఆ పూటకు అది చాలు.

విశాఖకు ఈ సంగతి కొత్త కాదు

అక్క ఇల్లు ఏ కాలనీలో ఉందో రాయను. కుక్క పేరు కూడా మార్చా. బీచ్ గురించి రాయడానికి మాత్రం ఏ అడ్డూ లేదు, అది అందరిదీ.

మర్నాడు పొద్దున్నే ఆర్.కె. బీచ్‌కి వెళ్లాం. ఒడ్డున నిలబెట్టిన కురుసుర సబ్‌మెరైన్, రోడ్డుకు అటువైపు టీయూ 142 విమానం, దక్షిణాన సముద్రంలోకి ముక్కు చాచిన డాల్ఫిన్స్ నోస్ కొండ. తూర్పు నౌకాదళ కేంద్రం ఉన్న ఊరు కదా, ఎవరు ఎక్కడున్నారన్న చిన్న సమాచారం విలువ ఎంతో ఈ ఊరికి బాగా తెలుసు. 2019లో ఆంధ్రప్రదేశ్ పోలీసు నిఘా విభాగం ఆ కొండ పేరుతోనే ఒక ఆపరేషన్ చేసి గూఢచర్యం కేసు బయటపెట్టింది. నౌకాదళ సిబ్బంది ఏడుగురు అరెస్టయ్యారు. ఆ డిసెంబర్‌లోనే నౌకాదళం తన స్థావరాల్లో, నౌకల్లో స్మార్ట్‌ఫోన్లు నిషేధించింది.

అంతకుముందు ఇంకో కథ. స్ట్రావా అనే ఫిట్‌నెస్ యాప్ 2017 నవంబర్‌లో తన యూజర్లు పరిగెత్తిన దారులన్నీ కలిపి ఒక ప్రపంచ పటం పెట్టింది. అందులో పేర్లేమీ లేవు. అయినా 2018 జనవరిలో నాథన్ రూజర్ అనే ఆస్ట్రేలియా విద్యార్థి దాన్ని చూసి, ఎడారి మధ్యలో వెలుగుతున్న గీతలు సైనిక స్థావరాలని పట్టేశాడు. జాగింగ్ చేసిన సైనికులు ఎవరికీ ఏమీ చెప్పలేదు. వాళ్ల కాళ్లు చెప్పేశాయి.

పెంపుడు జంతువుల విషయానికొస్తే, అమెరికాలో ఓవెన్ ముండీ అనే ప్రొఫెసర్ 2014లో ఒక వెబ్‌సైట్ పెట్టాడు. జనం నెట్లో పెట్టిన పిల్లుల ఫొటోలు దాదాపు పది లక్షలు తీసుకుని, ఆ ఫొటోల్లో దాగిన లొకేషన్ ఆధారంగా మ్యాప్ మీద అతికించాడు. మీ పిల్లి ఎక్కడుంటుందో నాకు తెలుసు అన్నది ఆ సైట్ పేరు. పిల్లి ఎక్కడుంటే దాన్ని పెంచేవాళ్లూ అక్కడే కదా!

బ్రిటన్‌లోని న్యూకాజిల్, రాయల్ హాలోవే యూనివర్సిటీల పరిశోధకులు పెంపుడు జంతువులు, పశువుల కోసం వచ్చిన 40 ఆండ్రాయిడ్ యాప్‌లను పరీక్షించారు. వాటిలో మూడింటిలో లాగిన్ వివరాలు ఏ రక్షణా లేకుండా నెట్‌వర్క్‌లో వెళ్తూ కనిపించాయి. బ్యాంకు యాప్‌కి పెట్టిన పాస్‌వర్డే కుక్క యాప్‌కీ పెట్టేవాళ్లు ఒకసారి ఆలోచించుకోండి.

కొత్త పట్టీ, కొత్త పద్ధతి

బ్రౌనీకి ట్రాకర్ వద్దనుకోలేదు మేం. కొత్త ఊరు, కొత్త వీధులు, సముద్రపు హోరు. బెదిరి పారిపోతే వెతకాలి కదా. అందుకే కొత్త కాలర్ కొన్నాం. అక్క టీ పెడుతుంటే నేను ఒక్కొక్కటీ చదివి చెప్పా, తనే నొక్కింది. ఆ వరుస మీకూ పనికొస్తుంది.

ఓనర్ అకౌంట్ మీ పేరు మీదే ఉండాలి. ఎవరు కొన్నారన్నది ముఖ్యం కాదు. దానికి వేరే మెయిల్, వేరే పాస్‌వర్డ్ పెట్టండి. పాతది ఇంకొకరి పేరు మీద ఉంటే మెంబర్‌గా ఉన్న మీరు వాళ్లను తీసేయలేకపోవచ్చు. అప్పుడు ఆ పరికరాన్నే మార్చడం మేలు.

యాప్ ఇంటి చుట్టూ ఒక వృత్తం గీయమంటుంది, కుక్క అది దాటితే అలర్ట్ ఇవ్వడానికి. దానికి హోమ్ అని పేరు పెట్టి సరిగ్గా ఇంటి మీద మధ్య బిందువు పెడితే మీ అడ్రస్ మీరే రాసిచ్చినట్టు. అక్క దగ్గర్లోని ఒక కూడలిని కేంద్రంగా పెట్టి, వృత్తం కొంచెం పెద్దది గీసి, దానికి ఒక పండు పేరు పెట్టింది.

యాప్ మీ ఫోన్ లొకేషన్ అడిగితే ఎందుకో చూడండి. కుక్క ఎక్కడుందో కాలర్ చెబుతోంది, మీ ఫోన్ ఎక్కడుందో ఎప్పుడూ చెప్పాల్సిన పని లేదు. యాప్ వాడుతున్నప్పుడు మాత్రమే అన్నది ఎంచుకోండి. ఆండ్రాయిడ్ 12 నుంచి, ఐఓఎస్ 14 నుంచి కచ్చితమైన చోటు కాకుండా ఉజ్జాయింపు చోటు ఇచ్చే వీలు కూడా ఉంది.

కుక్కను చూసుకునే వాళ్లకు లైవ్ లింకు ఇస్తే పని అయ్యాక దాన్ని రద్దు చేయండి. మెడలో బిళ్ల మీద ఫోన్ నంబరు చాలు, ఇంటి నంబరు వద్దు. డాక్టర్ చర్మం కింద పెట్టే మైక్రోచిప్ గురించి భయం వద్దు. బియ్యపు గింజంత ఉండే దానిలో 15 అంకెల నంబరు మాత్రమే ఉంటుంది, జీపీఎస్ ఉండదు.

ఎయిర్‌ట్యాగ్ లాంటివి వేరే రకం. వాటిలో సిమ్ ఉండదు, చుట్టుపక్కల ఫోన్ల బ్లూటూత్ మీద ఆధారపడతాయి. ఎవరిదో ట్యాగ్ మీతోపాటు తిరుగుతుంటే ఫోన్ హెచ్చరించేలా యాపిల్, గూగుల్ కలిసి 2024 మేలో ఒక ఏర్పాటు తెచ్చాయి. కానీ సిమ్ ఉన్న జీపీఎస్ కాలర్ విషయంలో ఆ హెచ్చరిక రాదు. అక్కడ మీ కళ్లే అలర్ట్.

పాత దారులు చెరిపేయమని అడిగే హక్కు సంగతి కూడా తెలుసుకోండి. మన దేశంలో 2023లో వ్యక్తిగత డేటా రక్షణ చట్టం వచ్చింది, దాని నిబంధనలు 2025 నవంబర్‌లో ప్రకటించారు. దశలవారీగా అమల్లోకి వస్తున్నాయి. ఇచ్చిన అనుమతి వెనక్కి తీసుకోవడం, ఇవ్వడమంత సులువుగా ఉండాలని ఆ చట్టం చెబుతోంది.

పాత కాలర్‌ని తిరుగు ప్రయాణంలో నేనే వెనక్కి తెచ్చా. లాయరు సలహా మేరకు బావ సామాన్లతో కలిపి పంపించేశాం. ఈ వ్యాసం కూడా అక్క చదివి, రెండు వాక్యాలు కొట్టేసి, సరే అన్నాకే పంపుతున్నా.

మీ ఇంట్లో కుక్కో పిల్లో ఉండి, దాని మెడలో ట్రాకర్ ఉంటే ఇప్పుడే యాప్ తెరవండి. మెంబర్స్ అన్న చోట ఎన్ని పేర్లున్నాయో లెక్కపెట్టండి. ప్రతి పేరు దగ్గరా ఆగి, ఈ మనిషికి నా ఇంటి తాళం చెవి ఇస్తానా అని అడగండి. ఇవ్వననిపిస్తే ఆ పేరు అక్కడ ఉండకూడదు.