పడవ మీదినుంచి ఐదు ఊళ్లు

ఇటలీ వాయవ్య తీరంలో, జెనోవా నగరానికి ఆగ్నేయ దిక్కున, లా స్పెజియా అనే నౌకాపట్టణం ఉన్నది. మార్చి నెలాఖరు మొదలు నవంబరు ఆరంభం వరకు, సముద్రం అనుకూలించిన రోజులలో, ఉదయం పూట ఆ పట్టణపు రేవు నుంచి రెండంతస్తుల పడవలు బయలుదేరుతాయి. తీరం వెంబడి ఐదు చిన్న ఊళ్లను చూపించి సాయంత్రానికి తిరిగి వస్తాయి. ఆ ఐదింటికీ కలిపి చింక్వే తెర్రే అని పేరు. ఐదు నేలలు అని దాని అర్థం. అనుభవం గల ప్రయాణికులు పడవ ఎక్కగానే పై అంతస్తుకు చేరి కుడివైపు బల్లలను ఆక్రమించుకుంటారు. పోయేటప్పుడు తీరమంతా కుడిచేతి వైపే ఉంటుంది. ఎడమవైపు కూర్చున్నవారికి దక్కేది సముద్రమూ, కుడివైపువారి వీపులూ మాత్రమే.

ఈ ఐదు ఊళ్లకూ రైలు లేకపోలేదు. జెనోవా నుంచి లా స్పెజియాకు రైలుమార్గం 1874లో పూర్తయింది. అంతవరకు కాలిబాటలూ పడవలూ తప్ప బయటి లోకంతో సంబంధం లేని ఊళ్లు ఒక్కసారిగా పట్టణానికి పొరుగు ఊళ్లయినాయి. అయితే ఆ మార్గంలో అధికభాగం కొండను తొలిచిన సొరంగమే. రైలు కిటికీలో సముద్రం ఒక్క మెరుపు మెరిసి చీకటిలో కలిసిపోతుంది. కాలిబాటన నడిచేవారికి ఒక మలుపు, ఒక ఊరు, మళ్లీ ఒక మలుపు. మొత్తం తీరం ఒకే చూపులో అందేది నీటి మీదినుంచే.

రేవు దాటిన తరువాత కొంతసేపు ప్రయాణం శాంతంగా సాగుతుంది. ఒక పక్క ఇటలీ నౌకాదళపు ఆయుధాగారపు గోడలు, దాని ముందు బూడిదరంగు యుద్ధనౌకలు, మరికొంత దూరం పోగానే ఆల్చిప్పల పెంపకానికి వరుసలుగా కట్టిన తేలుబుంగలు కనిపిస్తాయి. ఈ అఖాతానికి కవుల అఖాతమని పేరు. ఆంగ్లకవి షెల్లీ తన చివరి వేసవిని ఇక్కడి సాన్ తెరెంజో గ్రామంలో గడిపాడు. 1822 జూలై 8వ తేదీన లివోర్నో నుంచి తన చిన్న తెరచాప పడవలో తిరిగి వస్తూ తుఫానులో చిక్కి మునిగిపోయాడు. అప్పటికి ఆయనకు ముప్పై ఏళ్లు నిండలేదు. మిత్రుడు బైరన్ పోర్తోవేనెరే నుంచి అఖాతాన్ని ఈది అవతలి ఒడ్డుకు చేరాడని స్థానికుల కథనం. పోర్తోవేనెరే చివర ఒక రాతి గుహకు ఆయన పేరే పెట్టారు. కథ ఎంతవరకు నిజమైనా, అద్దంలా కనిపించే ఈ నీరు ఎంత త్వరగా మనసు మార్చుకోగలదో షెల్లీ మరణం చెప్పకనే చెబుతుంది.

పోర్తోవేనెరే అంటే వీనస్ దేవత రేవు. ఎరుపు, పసుపు, గులాబి రంగుల ఇళ్లు ఎత్తుగా, ఇరుకుగా, ఒకదానికొకటి భుజాలు ఆనించి నీటి అంచున నిలుచున్నాయి. వాటికి కొసన, సముద్రంలోకి చొచ్చుకుపోయిన బండ మీద, నలుపు తెలుపు పట్టెల సాన్ పియెత్రో దేవాలయం ఉన్నది. ఎదురుగా పల్మారియా ద్వీపం. ఆ రెండింటి నడుమ ఇరుకు జలసంధిలోనుంచి పడవ బయటికి రాగానే అడుగున నీరు మారిపోతుంది. అంతవరకు ఊగనిది ఊగనారంభిస్తుంది. ముచ్చటలు తగ్గుతాయి. చేతులు కటకటాలను వెతుక్కుంటాయి. ఇది అఖాతం కాదు, మధ్యధరా సముద్రం.

మొదట కనిపించేది ముజ్జెరోనే శిఖరపు నిట్టనిలువు రాతిగోడ. దాని మీద సముద్రపు పక్షులకు తప్ప మరొకరికి కాలు నిలిచే చోటు లేదనిపిస్తుంది. ఆ తరువాత కొండలు కొద్దిగా వెనక్కు వాలుతాయి. వాటి ఒంటి మీద సన్నని గీతలు కనబడతాయి, నీటి అంచుకు కాస్త పైనుంచి శిఖరాల దాకా, ఒకదానిపై ఒకటి, వందలకొద్దీ. మొదటిసారి చూసినవారు అవి రాతిపొరలనుకొంటారు. పడవ దగ్గరవుతున్నకొద్దీ గీతలు గోడలవుతాయి. ప్రతి గోడ వెనుకా మూడు నాలుగు బారల మట్టి, ఆ మట్టిలో ఒక వరుస ద్రాక్ష. హిమాలయ గ్రామాలలోని మెట్లచేలను చూసినవారికి ఈ ఏర్పాటు పరిచితమే. అయితే అక్కడ చేను జారితే కింద లోయ ఉంటుంది, ఇక్కడ సముద్రం ఉంటుంది.

సుమారు వెయ్యి సంవత్సరాల కిందట ఈ పని మొదలయినది. రైతులు కొండను తవ్వి, తవ్వినప్పుడు దొరికిన రాయినే పేర్చి గోడ కట్టారు. మట్టిని గంపలతో మోసి గోడ వెనుక నింపారు. ఆ గోడలో సున్నం లేదు, సిమెంటు లేదు. రాయికి రాయి ఆధారం. ఇది పేదరికం వలన వచ్చిన పద్ధతి మాత్రమే కాదు, ఇందులో తెలివి ఉన్నది. వాన కురిసినప్పుడు మట్టి పీల్చుకొన్న నీరు రాళ్ల సందులలోనుంచి ఊటగా బయటికి పోతుంది. అదే సున్నంతో బిగించిన గోడ అయితే వెనుక నిలిచిన నీటి బరువుకు ఒకనాడు పగిలిపోతుంది. ఈ తీరంలో ఇటువంటి గోడల మొత్తం పొడవు 6,000 కిలోమీటర్లకు పైనే ఉంటుందని అంచనా. ఐదు ఊళ్లున్న తీరం పొడవు మాత్రం సుమారు 15 కిలోమీటర్లు.

వట్టి రాతిగోడకు ఒక బలహీనత ఉన్నది. దానిని ఎవరో ఒకరు కనిపెట్టి ఉండాలి. అడవిపంది తవ్వినా, చెట్టువేరు తోసినా ఒక రాయి ఊడిపడుతుంది. ఆ వారంలోనే దాన్ని తిరిగి పెడితే అరగంట పని. వదిలివేస్తే ఆ సందులోనుంచి మట్టి జారుతుంది, గోడ గర్భిణిలా ఉబ్బుతుంది, రెండు మూడు వానాకాలాలకు కూలుతుంది. కూలినది కింది గోడ మీద పడుతుంది. పడవ మీదినుంచి ఆ గాయాలు స్పష్టంగా కనిపిస్తాయి. ఇక్కడ చక్కని గీతలు, పక్కనే గీతలను మింగిన పొదలు, ఆ పక్కన మట్టి జారి తెల్లబడ్డ కొండ. ఒకప్పుడు సాగైన భూమిలో అత్యధిక భాగం నేడు బీడు. లా స్పెజియా ఆయుధాగారమూ, రైలూ వచ్చిననాటి నుంచే యువకులు గంప దించి నెలజీతం వైపు నడిచారు. వారిని తప్పుపట్టడం కష్టం. ఈ తీగలకు కట్టే పందిళ్లు సముద్రపు గాలికి భయపడి నడుము ఎత్తుకు మించనివి. వాటి కింద కోత కోయడమంటే వంగి, పాకి, మళ్లీ గంప నెత్తిన పెట్టుకొని మెట్లు ఎక్కడమే.

మొదటి ఊరు రియోమజ్జోరే. ఇక్కడ రేవు అనదగినది లేదు. పడవవారు ముక్కును బండకు ఆనించి, ముందు భాగంలోనుంచి ఇరుకైన బల్లవంతెనను దించుతారు. అల లేచినప్పుడు బల్ల లేస్తుంది, దిగినప్పుడు దిగుతుంది. ఇద్దరు నావికులు చెరొక వైపు నిలిచి, అల నడుమ విరామం చూసి, ఒక్కొక్కరిని చేయిపట్టి అవతలికి దాటిస్తారు. వృద్ధులకూ యువకులకూ అదే మర్యాద. ఇక్కడినుంచి మనరోలా వరకు సముద్రానికి పైగా కొండ అంచున ఒక బాట కనిపిస్తుంది. దాని పేరు ప్రేమబాట. పొడవు కిలోమీటరుకు లోపే. 2012 సెప్టెంబరులో కొండరాళ్లు విరిగిపడి నలుగురు ప్రయాణికులు గాయపడగా దాన్ని మూసివేశారు. కొండకు ఉక్కువలలు బిగించి పూర్తిగా తిరిగి తెరిచేసరికి 2024 వచ్చింది.

మనరోలా నల్లని బండపై పోగుపోసినట్లున్న ఊరు. రేవు ఇరుకైనందున జాలరులు తమ పడవలను క్రేనుతో పైకెత్తి, వీధిలో ఇళ్ల ముందు నిలుపుకొంటారు. ఊరి వెనుక చేలలో ద్రాక్ష ఇంకా బాగానే పండుతున్నది. మేలైన గుత్తులను కోసి, నీడన ఆరబెట్టి, ఎండుద్రాక్షకు దగ్గరపడిన తరువాత పిండి షక్కెత్రా అనే తియ్యని మద్యం తీస్తారు. చాలా పండుకు కొద్ది రసం. అందుకే ఈ ఊళ్లలో దాన్ని చిన్న గ్లాసులలో, పెండ్లికీ పండుగకూ తాగడం ఆచారం. కొన్ని చేలలో గంపకు బదులు పళ్లచక్రంతో ఒంటిపట్టా మీద పాకే చిన్న మోటారుబండి పండ్లను మోస్తున్నది. దాని చప్పుడు గాలివాటున పడవ దాకా వినిపిస్తుంది.

మూడవ ఊరు కొర్నీలియా వద్ద పడవ ఆగదు. ఆ ఊరు సముద్రానికి సుమారు 100 మీటర్ల ఎత్తున, కొండకొమ్ము మీద ఉన్నది. రైలు దిగినవారు సైతం 380కి పైగా మెట్లెక్కాలి. ఐదింటిలో సముద్రానికి వీపు తిప్పిన ఊరు ఇదొక్కటే. ఇక్కడివారు పూర్వం నుంచి జాలరులకంటె ఎక్కువగా రైతులు.

వెర్నాజ్జాకు వచ్చేసరికి పై అంతస్తులో అందరూ లేచి నిలబడతారు. ఐదింటిలో సహజమైన రేవున్న ఊరు ఇదే. ఒక పక్క బండ మీద గుండ్రని కోటబురుజు, మరొక పక్క నీటిని ఆనుకొని ఎనిమిది పలకల గంటగోపురంతో సాంతా మర్గెరీతా దేవాలయం, నడుమ చిన్న చౌకు, అందులోనుంచి కొండలోకి పోయే ఒకే ఒక పెద్దవీధి. ఆ వీధి నిజానికి వీధి కాదు, పైకప్పు వేసిన వాగు. స్థలం లేని ఈ ఊళ్లలో ఇళ్ల నడుమ పారే వాగులను కప్పి బాటలు చేసుకొన్నారు.

2011 అక్టోబరు 25వ తేదీ మధ్యాహ్నం వాగు తన దారిని తిరిగి అడిగింది. కొన్ని గంటలలో కురిసిన కుండపోతకు వెనుక కొండలు జారి, మట్టి, బండలు, చెట్లు, మోటారుకార్లు కలగలిసి ఆ పెద్దవీధి గుండా రేవులోకి వచ్చిపడ్డాయి. వీధిలో సుమారు నాలుగు మీటర్ల ఎత్తున బురద పేరుకొన్నది. దుకాణాల తలుపులు పూర్తిగా మాయమయినాయి. వెర్నాజ్జాలో ముగ్గురు మరణించారు. పొరుగు ఊరు మోంతెరొస్సో కూడా దెబ్బతిన్నది. రోడ్డు తెగింది, రైలు ఆగింది. వెర్నాజ్జావాసులను పడవల మీద తరలించవలసి వచ్చింది. రైలు రాకముందు తాతముత్తాతలకు ఏది దారో, ఆనాడు మళ్లీ అదే దారి అయింది.

తరువాత ఆ కొండలను పరిశీలించిన భూశాస్త్రజ్ఞులు ఒక సంగతి గుర్తించారు. కొండచరియలు ఎక్కువగా విరిగింది సాగు మాని ఎంతో కాలం కాని మెట్లచేలలో. ఎప్పుడో వదిలివేయగా అడవి పూర్తిగా కమ్మిన చోట వేళ్లు మట్టిని కొంత పట్టి ఉంచాయి. మనిషి చేయి ఉన్న చోట గోడలు పట్టి ఉంచాయి. చేయి తీసి, అడవి ఇంకా రాని నడిమికాలమే ప్రమాదకరమైనది. పడవ మీదినుంచి అందంగా కనిపించే గీతలకూ, కింది వీధిలోని ఇళ్ల భద్రతకూ ఉన్న సంబంధం అది.

మధ్యాహ్నభోజనం మోంతెరొస్సోలో. ఐదింటిలో పెద్దది, ఇసుకతీరం ఉన్నది ఇదే. ఉప్పులో ఊరవేసిన నెత్తళ్లకు ఈ ఊరు పేరుమోసింది. నిమ్మరసం, ఆలివ్ నూనెతో పచ్చి నెత్తళ్లను కూడా వడ్డిస్తారు. చేపలు తిననివారికి తులసిజాతి ఆకు, పైన్ గింజలు కలిపి నూరిన ఆకుపచ్చని పచ్చడి రొట్టెతో దొరుకుతుంది. ఇసుకతీరపు చివర 1910లో సిమెంటుతో నిర్మించిన సముద్రదేవుని విగ్రహం ఉన్నది. ఎత్తు 14 మీటర్లు. యుద్ధకాలపు బాంబులూ, తరువాత తుఫానూ దాని చేతులను తీసుకుపోయాయి. ఇప్పుడది దేవునికంటె అలసిన కూలివానిలా కనిపిస్తుంది. 1975లో నోబెల్ బహుమానం పొందిన కవి యుజేనియో మోంతాలే బాల్యపు వేసవులు గడిపినది ఈ ఊరిలోనే. ఎండకు మాడిన గోడలు, ఎండిన నేల ఆయన తొలి కవితలలో నిండి ఉండటం చూస్తే, ఆయన ఈ తీరాన్ని విహారస్థలంగా చూడలేదని తెలుస్తుంది.

ఇప్పుడు చూసేవారికి కొదవ లేదు. ఐదు ఊళ్లలోనూ కలిపి జనసంఖ్య నాలుగు వేలకు మించదు. వచ్చిపోయేవారు ఏటా 20 లక్షలకు పైబడి ఉంటారు. 1997లో యునెస్కో ఈ తీరాన్ని ప్రపంచ వారసత్వ స్థలంగా గుర్తించింది. 1999లో ఇది జాతీయవనమయింది. ఇటలీలోని జాతీయవనాలలో కెల్లా చిన్నది. మనిషి చేసిన గోడలను కాపాడటం వనాధికారుల ప్రధాన కర్తవ్యాలలో ఒకటి కావడం వింతే. 2018లో వట్టి రాతిగోడలు కట్టే విద్యను సైతం యునెస్కో మానవజాతి వారసత్వంలో చేర్చింది. ఇటలీతో బాటు మరి ఏడు దేశాలు ఆ గౌరవాన్ని పంచుకొన్నాయి.

గౌరవపత్రం మాత్రం రాయి ఎత్తదు. ఒక గదిని యాత్రికునికి అద్దెకిచ్చిన ఇంటాయనకు ఏడాది పొడవునా ద్రాక్ష పండించినంత ఆదాయం కొద్ది వారాలలో వచ్చేటప్పుడు, మార్చి చలిలో గోడ మరమ్మతుకు కొండెక్కేది ఎవరు? ఆ గదికి గిరాకీ తెచ్చినదేమో కిటికీలోనుంచి కనిపించే ఆ గోడలే. మనరోలా పరిసరాలలో కొందరు ఈ చిక్కును గ్రహించి, బీడుపడ్డ చేలను తిరిగి తెరవటానికి, రాయి పేర్చే పని కొత్తవారికి నేర్పటానికి పూనుకొన్నారు. నేర్చుకొనేవారిలో ఇతర దేశాలనుంచి వచ్చినవారూ ఉన్నారు. ఈ పనిలో తొందర పనికిరాదు. రోజంతా కష్టపడితే లేచేది కొద్ది మీటర్ల గోడ.

సాయంత్రం పడవ మోంతెరొస్సో నుంచి వెనుదిరుగుతుంది. ఇప్పుడు తీరం ఎడమచేతి వైపు. ఉదయం మోసపోయినవారు ముందుగానే చేరి చోటు చూసుకొంటారు. సూర్యుడు పడమట సముద్రం మీదికి వాలగా, ఏటవాలు వెలుగు నేరుగా కొండను తాకుతుంది. నిలిచిన ప్రతి గోడ కిందా ఒక సన్నని నీడగీత పడుతుంది. కూలిన చోట గీత తెగిపోతుంది. గీతల నడుమ అక్కడక్కడ ఒక మనిషి, రంగుచొక్కా వలన మాత్రమే మనిషి అని తెలిసేంత చిన్నగా, వంగి ఏదో పని చేసుకొంటూ కనిపిస్తాడు. పడవ మీదివారు చేయి ఊపుతారు. అతడి రెండు చేతులలోనూ రాయి ఉన్నది.