గడ్డి మేసే ప్రాణుల నేల: రోళ్లపాడు

పాతికేళ్లకు పైగా మద్రసాలో ఫిఖ్‌హ్ బోధిస్తున్నాను. జనం అడిగే సందేహాలు సాధారణంగా నమాజు, జకాత్, తలాఖ్, ఆస్తి పంపకాల చుట్టూ తిరుగుతుంటాయి. గత డిసెంబరులో మాత్రం నా పాత శిష్యుడొకడు ఫోను చేసి, "ఉస్తాద్, మా అబ్బాజాన్‌కు ఒక సందేహం ఉంది. ఫోనులో చెప్పేది కాదంటున్నారు. మీరు వచ్చి, చేను చూసి జవాబు చెప్పాలట" అన్నాడు. చేను చూసి చెప్పవలసిన మస్‌అలా ఏమై ఉంటుందా అన్న కుతూహలంతో ఒక ఆదివారం ఫజ్ర్ నమాజు ముగించుకుని కర్నూలులో నందికొట్కూరు బస్సెక్కాను. అక్కడి నుండి శిష్యుని మోటారు సైకిలు మీద మిడ్తూరు మండలంలోని రోళ్లపాడు వైపు సాగాము.

చేను దూరం నుండి చూస్తే పెళ్లి పందిరిలా ఉంది. ఆరెకరాల శనగ పైరు చుట్టూ కర్రలు పాతి పాత చీరలు కట్టారు. నీలం, ఆకుపచ్చ, వెలిసిపోయిన గులాబీ రంగు. నడుమ నడుమ ఇంటి ఆడపిల్లల దుపట్టాలు కూడా ఉన్నాయి. ఒక మూల మాత్రం పైరు కత్తెరతో కత్తిరించినట్లు నేలమట్టంగా ఉంది. నా శిష్యుని తండ్రి, అరవై దాటిన మనిషి, సలాం చేసి ఆ మూలనే చూపించారు.

"రాత్రి జింకలు వచ్చాయి హజ్రత్. ఈ చీరలకు అవి ఇప్పుడు భయపడటం లేదు. తీగ చుట్టి కరెంటు పెడితే షరీఅత్ ప్రకారం నా మీద దోషం ఉంటుందా?"

నేను వెంటనే సమాధానం చెప్పలేదు. ముందు ఆ జింకలుండే అడవిని చూసి వద్దామన్నాను. ఆయన నవ్వారు. "అడవి ఎక్కడిది హజ్రత్, అంతా గడ్డే కదా!"

ఆయన అన్నది అక్షరాలా నిజం. అభయారణ్యం అనగానే మన మనసులో మెదిలే మహావృక్షాలు రోళ్లపాడులో లేవు. 6.14 చదరపు కిలోమీటర్ల మేర చిన్న చిన్న ఎత్తుపల్లాలతో పరచుకున్న పచ్చిక, అక్కడక్కడ పొదలు, పైన విశాలమైన ఆకాశం, అంతే. డిసెంబరు ఎండకు ఆ గడ్డి గోధుమ రంగుకు తిరిగి ఉంది. ఇటువంటి నేలను మనం తరతరాలుగా 'బంజరు' అని పిలుస్తూ వచ్చాము. చెట్టు లేని చోట ఏమీ లేదని మన కంటికి అలవాటు. నేనూ ఆ అలవాటుతోనే వెళ్లాను.

1988లో దీనిని అభయారణ్యంగా ప్రకటించింది బట్టమేక పక్షి కోసం. మనిషి నడుము ఎత్తుకు పైగా పెరిగి, పచ్చిక మీద హుందాగా నడిచే భారీ పక్షి అది. నేల మీదే, గడ్డి మాటున, సాధారణంగా ఏడాదికి ఒకే ఒక్క గుడ్డు పెడుతుంది. 1980ల దశకంలో బొంబాయి నాచురల్ హిస్టరీ సొసైటీ పరిశోధకులు ఇక్కడ ఉండి ఆ పక్షి జీవితాన్ని అధ్యయనం చేశారు. వారిలో, తరువాతి కాలంలో ఆ సంస్థకే డైరెక్టరైన అసద్ రహ్మానీ ఒకరు. ఆ సంస్థకు దశాబ్దాల పాటు వెన్నెముకగా నిలిచిన డాక్టర్ సలీం అలీ పేరు మన పాఠకులకు తెలిసినదే. మన పిల్లలు వైద్యం, ఇంజనీరింగు తప్ప మరో విద్య లేదనుకుంటున్న ఈ రోజుల్లో ఇటువంటి వారి పేర్లు ఇంట్లో వినబడటం మంచిది.

విషాదమేమంటే, ఎవరి కోసం ఈ నేలను కాపాడారో ఆ బట్టమేక కొన్నేళ్లుగా ఇక్కడ కనిపించడం లేదు. దేశం మొత్తం మీద అవి నూటయాభై లోపే మిగిలాయి. వాటిలో అధిక భాగం రాజస్థాన్‌లోనే ఉన్నాయి. రోళ్లపాడులో ఇప్పుడు మనకు ఎదురయ్యేది కృష్ణజింకలు. మేము వెళ్లినప్పుడు గట్టు అవతల ఒక మంద మేస్తూ ఉంది. మెలి తిరిగిన కొమ్ములు, నల్లని వీపు, తెల్లని పొట్ట గల మగ జింక తల ఎత్తి మమ్మల్ని చూసింది. ఆడ జింకలు తల కూడా ఎత్తలేదు.

మాతో వచ్చిన ఆ ఇంటి మనవరాలు తన పాఠ్యపుస్తకంలోని మాట ఒప్పజెప్పింది: "ఇవి ప్రాథమిక వినియోగదారులు, దాదా. గడ్డి ఉత్పత్తిదారు. తోడేలు ద్వితీయ వినియోగదారు." పిల్ల చెప్పింది సరైనదే. కాని 'వినియోగదారు' అన్న మాట వినగానే నాకు దుకాణంలో సరుకు కొని సంచీలో వేసుకుని పోయే మనిషి గుర్తుకు వచ్చాడు. తీసుకుపోవడమే తప్ప తిరిగి ఇవ్వడం ఆ మాటలో లేదు. ఆ రోజు ఆ పచ్చికలో నేను చూసింది వేరు.

గడ్డిని గురించి ఒక్కసారి ఆలోచించండి. సూర్యకాంతిని ఆహారంగా మార్చే సామర్థ్యం దానికుంది. కాని ఆ ఆహారం పీచు రూపంలో బంధించబడి ఉంది. తోడేలుకు అది పనికిరాదు, డేగకు పనికిరాదు, మనకూ పనికిరాదు. ఆశ్చర్యమేమిటంటే, జింక కూడా సొంతంగా దానిని జీర్ణం చేసుకోలేదు. నాలుగు గదులున్న దాని కడుపులో కంటికి కనిపించని కోట్లాది సూక్ష్మజీవులున్నాయి. పీచును విడగొట్టే పని వాటిది. జింక మేస్తుంది, నెమరు వేస్తుంది, ఆ సూక్ష్మజీవులకు వెచ్చని చోటిస్తుంది. గొర్రె, మేక, ఆవు, ఒంటె అన్నింటిదీ ఇదే పద్ధతి. మన ఖుర్బానీ మాంసమైనా, ఉదయం టీలో పడే పాలైనా, ఒకప్పుడు ఎవరూ తినలేని గడ్డే. గడ్డికీ తక్కిన జీవలోకానికీ నడుమనున్న ద్వారం ఈ మేసే ప్రాణులే. ఖుర్‌ఆన్‌లోని ఆరవ సూరాకు 'అన్‌ఆమ్', అనగా పశువులు, అనే పేరుండటం మనకు తెలుసు. ఆ పేరును ఇన్నేళ్లు పాఠంగా చెప్పానే గాని, పశువు చేసే పనిని గురించి ఇంతగా ఎన్నడూ ఆలోచించలేదు.

ఈ ద్వారం గుండా వెళ్లేది కొద్ది మాత్రమే. గడ్డిలో నిలవైన శక్తిలో సుమారు పదో వంతు మేసే ప్రాణి దేహంగా నిలుస్తుందనీ, దానిని వేటాడే ప్రాణికి అందులో మళ్లీ పదో వంతే దక్కుతుందనీ శాస్త్రజ్ఞులు ఒక మోటు లెక్క చెబుతారు. తక్కినది ఊపిరిగా, వేడిగా, పరుగుగా, పేడగా పోతుంది. కనుకనే జింకలు మందలుగానూ, తోడేళ్లు వేళ్ల మీద లెక్కించేంతగానూ ఉంటాయి. వర్షాధార పంటపై ఉష్ర్ కూడా పదో వంతే కదా అని నా శిష్యుడు ఉత్సాహంగా అన్నాడు. నేను వారించాను. అంకెలు కలిసిన ప్రతి చోటా మహిమను వెతకడం పండిత లక్షణం కాదు. ప్రకృతిలో ఆ వంతు ఒక చోట తక్కువగానూ మరో చోట ఎక్కువగానూ ఉంటుంది.

మేసే ప్రాణి తిరిగి ఇచ్చేది కూడా ఉంది. గడ్డి మొక్క పెరిగే మొన నేలకు దగ్గరగా ఉంటుంది గనుక పైభాగం కొరికినా అది చావదు, మళ్లీ చిగురిస్తుంది. ఎవరూ మేయకపోతే నిరుటి ఎండు గడ్డి నిలబడిపోయి కొత్త చిగురుకు వెలుతురు తగలనివ్వదు. పేడ ద్వారా సారం నేలకు చేరుతుంది. మగ జింకలు తమ హద్దులు చాటుకునేందుకు ఒకే చోట పదే పదే పేడ వేసిన కుప్పలను శిష్యుడు చూపించాడు. వాటిని పేడపురుగులు తొలుస్తున్నాయి.

జింక పెద్దది గనుక కంటికి ఆనుతుంది. అడుగు వేస్తే ఎగిరే మిడతను ఎవరూ లెక్కలోకి తీసుకోరు. అది కూడా గడ్డి తినేదే, అదీ ఒక ద్వారమే. బట్టమేక పక్షి స్వయంగా గడ్డి మేసి బతకదు. మిడతలు, పురుగులు, గింజలు, రేగుపండ్ల వంటివి దాని ఆహారం. మేము చూస్తుండగానే సన్నని రెక్కల గద్ద జాతి పక్షి ఒకటి గడ్డి మీద తక్కువ ఎత్తులో తేలుతూ పోయింది. ఇవి శీతాకాలంలో మధ్య ఆసియా నుండి వస్తాయి. హదీసు గ్రంథకర్తల జీవిత చరిత్రల్లో మనం చదివే బుఖారా, సమర్‌ఖంద్‌లకు ఉత్తరాన ఉన్న గడ్డి మైదానాలు వాటి పుట్టిళ్లు. అన్ని వేల మైళ్లు దాటి అవి ఇక్కడికి వచ్చేది చాలావరకు ఈ మిడతలను నమ్ముకునే. చేలల్లో పురుగుమందు చల్లినప్పుడల్లా ఆ పక్షి విస్తరి కూడా ఖాళీ అవుతోందన్న మాట.

ఇక ద్వారం మరీ వెడల్పయితే ఏమవుతుంది? అభయారణ్యానికి ముందు ఇక్కడ జింకలు పదుల లెక్కలో ఉండేవనీ, కాపుదల వచ్చాక వందలయ్యాయనీ ఊరి పెద్దలు చెప్పారు. తోడేళ్లు తగ్గాయి. చుట్టూ ఉన్న గడ్డి నేలలు కాలువ నీటి రాకతో దుక్కిలోకి వెళ్లిపోయాయి. ఆరు చదరపు కిలోమీటర్ల గడ్డి అన్ని నోళ్లకు చాలదు. చాలనప్పుడు శనగ చేను ఉండనే ఉంది. గడ్డి మరీ పొట్టిగా మేయబడితే నేల మీద పెట్టిన గుడ్డుకు చాటు ఉండదు. పైగా జింకలు సర్కారు తుమ్మ కాయలను ఇష్టంగా తింటాయి. గింజలు జీర్ణం కాకుండా పేడతో బయటపడి మొలుస్తాయి. ఒక పేడ కుప్పలో మొలిచిన చిన్న తుమ్మ మొక్కను మనవరాలు పీకి మాకు చూపించింది. పచ్చికను నిలబెట్టే ప్రాణే పచ్చికను మింగే ముళ్లచెట్టును కూడా నాటుతోంది! బట్టమేక పోవడానికి జింకలే కారణమని కొందరు ఊరివారు నమ్ముతున్నారు. నేను అలా అనుకోను. చుట్టుపక్కల నేల పోవడమే అసలు దెబ్బ. జింకకు వెళ్లేందుకు మరో చోటు మిగల్చకుండా దానిని నిందించడం న్యాయం కాదు.

తిరుగుదారిలో ఒక గొర్రెల కాపరి కలిశాడు. ముప్ఫై దాకా గొర్రెలున్నాయి. నన్ను చూసి, "సాయెబూ, జింక మేస్తే సర్కారుది, గొర్రె మేస్తే దొంగది. యాడ మేపుకోమంటారో అడగండి మీరన్నా" అన్నాడు. చేలన్నీ దుక్కిలో పడ్డాయి, అభయారణ్యంలోకి రానివ్వరు. ఆయన గొర్రె, ఆ జింక, ఆ మిడత, ముగ్గురూ ఒకే విస్తరి దగ్గర కూర్చున్నవారే.

మదీనా సమీపంలోని నఖీఅ మైదానాన్ని దైవప్రవక్త (సఅసం) మేత కోసం 'హిమా'గా, అంటే రక్షిత భూమిగా ఉంచారు. హజ్రత్ ఉమర్ (రజి) తన కాలంలో ఒక హిమాకు కాపలాదారుగా హునై అనే వ్యక్తిని నియమించినప్పుడు చేసిన హితవు సహీహ్ బుఖారీలో ఉంది. కొద్దిపాటి గొర్రెలు, ఒంటెలు ఉన్న పేదవాడిని లోనికి రానివ్వాలనీ, అబ్దుర్రహ్మాన్ బిన్ ఔఫ్, ఉస్మాన్ బిన్ అఫ్ఫాన్ల మందలను దూరంగా ఉంచాలనీ ఆయన చెప్పారు. ధనికుల మందలు నశించినా వారికి తోటలున్నాయి. పేదవాడి మంద నశిస్తే అతడు పిల్లలతో సహా ఖలీఫా గుమ్మంలో నిలబడతాడు. అప్పుడు ఖజానా నుండి బంగారం ఇవ్వడం కంటే ఇప్పుడు గడ్డి, నీరు ఇవ్వడమే తేలిక. ఎవరి మంద ఎంత, ఎవరికి వేరే ఆధారం ఉంది అన్న లెక్క ఆ హితవులో ఉంది. రోళ్లపాడులో ఏ నెలలో ఎంత గడ్డి ఉంది, ఎన్ని నోళ్లున్నాయి, ఎండు గడ్డి మిగిలిన చోట వంతులవారీగా కొన్ని గొర్రెలను రానివ్వవచ్చునా అన్న లెక్కను కాపరులతో కూర్చుని వేయవలసింది. ఆ కాపరి మాటలను బట్టి ఆయనతో ఎవరూ కూర్చోలేదు.

జుహ్ర్ తరువాత, భోజనాల దగ్గర, ఆయన అడిగిన ప్రశ్నకు వచ్చాను. కరెంటు తీగ కూడదన్నాను. కృష్ణజింక మన రాష్ట్ర జంతువు. 1972 నాటి వన్యప్రాణి చట్టం దానికి అత్యున్నత రక్షణ ఇచ్చింది. జింక మాంసం మన ధర్మంలో హలాలే అయినా, తీగ తగిలి చచ్చినది జబీహా కాదు, ముర్దార్. అంతకంటే ముఖ్యం, ఆ తీగకు రాత్రి పూట మనిషికీ జింకకూ తేడా తెలియదు. బాటలో గొయ్యి తవ్విన వాడు, అందులో పడినవాని ప్రాణానికి బాధ్యుడని ఫుఖహా రాశారు. ఆ కాపరి కొడుకు రాత్రి తప్పిపోయిన గొర్రెను వెతుకుతూ ఇటు వస్తే?

ఆయన మౌనంగా విన్నారు. "మరి నా శనగ?" అన్నారు.

ఆ ప్రశ్న న్యాయమైనది. తోటలను పగలు కాపాడుకునే బాధ్యత తోటల యజమానులదనీ, రాత్రి పశువులు చేసిన నష్టానికి పశువుల యజమానులు బాధ్యులనీ దైవప్రవక్త (సఅసం) తీర్పు చెప్పినట్లు హదీసు ఉంది. ఫుఖహాలో దీనిపై అభిప్రాయభేదాలున్నాయి, అడవి జంతువుకు యజమాని ఉండడు కూడా. అయినా ఒక ప్రభుత్వం 'ఈ జింకలు నావి, ఎవరూ ముట్టరాదు' అన్నప్పుడు, రాత్రి నష్టంలో దానికి వంతు లేదనడం నాకు సబబుగా తోచలేదు. ఇది ఫత్వా కాదు, నా అభిప్రాయం అని స్పష్టంగా చెప్పి, నష్టపరిహారానికి అర్జీ నేనే రాసి పెట్టాను. ఇటువంటి అర్జీ ఆయన అంతకు ముందు రెండుసార్లు ఇచ్చారట.

సాయంత్రం అస్ర్ నమాజు చేని గట్టు మీదే చేశాము. సలాం తిప్పి చూసేసరికి మంద చీరల కంచెకు అవతల వరుసగా నిలబడి ఉంది. ఆయన లేచి భుజం మీది తువ్వాలు ఊపుతూ కేకలు వేశారు. అవి నాలుగు గెంతులు గెంతి ఆగాయి.

"సరే హజ్రత్, తీగ పెట్టను," అన్నారు ఆయన, వాటివైపే చూస్తూ. "కోత అయ్యేదాకా రాత్రి కాపలాకు మీ మద్రసా పిల్లలను పంపండి."

నేను నవ్వాను. ఆయన నవ్వలేదు.